కొత్త ఇంట్లో అడుగుపెట్టబోయే చిట్టికి

చిరంజీవి సౌభాగ్యవతి చిట్టికి పెదనాన్న ఆశీర్వదించి వ్రాయునది. ఇక్కడ మేమంతా క్షేమం.

నిజాంపేటలో నువ్వు కొన్న ఫ్లాటు ఫొటోలు మీ నాన్న పంపించాడు. ముప్ఫై నిండకముందే నీ పేరున రిజిస్ట్రేషన్ జరిగిందని మీ పెద్దమ్మ వీధిలో నలుగురికీ చెప్పి వచ్చింది. అయితే వడ్రంగి పని శ్రావణంలో ముగుస్తుందనీ, ముగిసిన పదో రోజునే గృహప్రవేశమనీ, నీకిప్పుడు నాలుగో నెల అనీ, కొత్త చెక్క వాసన పోవడానికి తలుపులు మూసి మూడు గదుల ఏసీలూ రాత్రింబవళ్లు నడిపిస్తే చాలని అల్లుడు అన్నాడనీ విన్నాక ఆ రాత్రి నాకు నిద్ర పట్టలేదు. ముప్ఫై ఏళ్లకు పైగా ఏసీలు బిగించి, విప్పి, కడిగి బతికినవాడిని కనుక, ఈ ఒక్క సంగతిలో నా మాట వినమని అడుగుతున్నాను.

స్ప్లిట్ ఏసీ బయటి గాలిని లోపలికి తేదు. బాల్కనీలో ఉన్న యూనిట్ నుంచి గోడలోకి వచ్చే రాగి గొట్టాల్లో తిరిగేది చల్లదనాన్ని మోసే గ్యాసే తప్ప గాలి కాదు. గదిలో ఉన్న గాలినే లాక్కుని, చల్లార్చి, మళ్లీ ఆ గదిలోకే వదలడం దాని పని. ముందున్న జాలీ దుమ్మును ఆపుతుంది గాని జిగురు, రంగు, పాలిష్‌ల నుంచి వచ్చే ఆవిరిని ఆపలేదు. పైగా చల్లగా ఉన్నప్పుడు చెక్క ఆవిరిని కాస్త తక్కువగా వదులుతుంది కనుక వాసన పోయిందనిపిస్తుంది; ఏసీ ఆపి గది వేడెక్కగానే అది మళ్లీ మొదలవుతుంది.

నా మాట మీద నీకు నమ్మకం కుదరాలంటే 1996 నాటి నా తప్పు చెప్పాలి. విజయవాడలో ఆ వేసవికి మీ అన్నకు ఆరో నెల. నేను అప్పుడే సొంతంగా షాపు పెట్టాను. ఏసీ మెకానిక్ ఇంట్లో ఏసీ లేదంటే నామోషీ అనుకుని ఒకటిన్నర టన్నుల విండో ఏసీ తెచ్చి పడకగదికి బిగించాను. అంతకు వారం ముందే ఆ గదిలో కొత్త బీరువా తలుపులకు మెలమిన్ పాలిష్ కొట్టించాను. విండో ఏసీ ముందు ప్యానెల్ పక్కన చిన్న వెంట్ మీట ఉండేది. దాన్ని తెరిస్తే గదిలోని గాలి కొంత బయటికి పోతుంది. చల్లదనం వృథా అవుతుందని దాన్ని మూశాను. మూసి ఊరుకోక, కిటికీ సందులన్నిటినీ ఫోమ్ టేపుతో అతికించాను. కస్టమర్లకూ అదే సలహా ఇచ్చేవాడిని. రెండో రాత్రి మీ పెద్దమ్మ కళ్లు మండుతున్నాయంది. కొత్త వాసన, నాలుగు రోజుల్లో పోతుందిలే అన్నాను. పిల్లవాడు పిడికిళ్లతో కళ్లు నులుముకుంటూ తెల్లవార్లూ దగ్గేవాడు. చలి పట్టిందనుకుని ఏసీ కాస్త తగ్గించి, ఆ కాస్త గాలి కూడా తగలకుండా తలుపు కింద తువ్వాలు కుక్కాను! డాక్టరు గారు మందు రాయకముందు ఒక్కటే అడిగారు, పగలు వరండాలో ఉయ్యాలలో పడుకున్నప్పుడు దగ్గుతున్నాడా అని. లేదు. అంతవరకూ ఆ తేడా నాకు తట్టలేదు. ఇంటికి వచ్చి టేపంతా గోళ్లతో పీకాను. బీరువా తలుపులు ఊడదీసి డాబా మీద ఎండలో రెండు నెలలు ఉంచాను. ఊళ్లో అందరి ఏసీలూ బాగుచేసిన ఈ చేతులే నా బిడ్డ గదికి గాలి లేకుండా చేశాయి. ఆ సంగతి ఇప్పటికీ మీ అన్నతో చెప్పలేదు, నువ్వూ చెప్పకు.

ఇక నీ ఇంటి విషయం. ప్లైవుడ్‌లో తేమను కొంతవరకు తట్టుకునే ఎంఆర్ అనే రకాన్ని సాధారణంగా యూరియా ఫార్మాల్డిహైడ్ జిగురుతో అంటిస్తారు. తేమ, వేడి తగిలితే ఆ జిగురు కొద్దికొద్దిగా విడిపోతూ నెలల తరబడి కళ్లు మండించే ఘాటు ఆవిరి అయిన ఫార్మాల్డిహైడ్‌ను వదులుతుంది. మరిగే నీటిని కూడా తట్టుకునే బీడబ్ల్యూపీ రకంలో వాడే ఫినాల్ జిగురు అంతకంటే చాలా తక్కువ వదులుతుంది. 2004లో ప్రపంచ ఆరోగ్య సంస్థకు చెందిన క్యాన్సర్ పరిశోధన సంస్థ ఫార్మాల్డిహైడ్‌ను మనుషులకు క్యాన్సర్ కలిగించే పదార్థాల్లో చేర్చింది. నిన్ను భయపెట్టడానికి కాదు, శ్రావణంలో తేమ ఎక్కువ కనుక తొందర వద్దని చెప్పడానికే ఇది రాస్తున్నాను. పడకగది పని ఇంకా మొదలు కాకపోతే బీడబ్ల్యూపీ వేయించు. చెక్క పొడిని జిగురుతో నొక్కి చేసే ఎండీఎఫ్ గాని పార్టికల్ బోర్డు గాని వాడితే కోసిన అంచు ఒక్కటి కూడా పచ్చిగా వదలకుండా, బీరువా వెనుక వైపుతో సహా అంచును మూసే బ్యాండ్ పట్టీ వేయించు.

హాట్ అండ్ కోల్డ్ ఏసీతో ఖాళీ గదిని రెండు రోజులు వేడి చేస్తే ఆవిరంతా పోతుందని అల్లుడికి ఎవరో చెప్పారట. కిటికీలు మూసి వేడి చేస్తే బయటికి వచ్చిన ఆవిరి పరుపుల్లోకీ కర్టెన్లలోకీ చేరి, తర్వాత తీరిగ్గా బయటపడుతుంది. వేడి చేయాలనుకుంటే గదిలో పరుపు, బట్ట ఏదీ లేనప్పుడు చేసి, వెంటనే ఎదురెదురు కిటికీలు తెరవాలి. అయినా ఒకసారితో అయ్యే పని కాదు.

గాలి ఎటు పోతున్నదో కంటితో చూసుకోవచ్చు. బాత్రూము ఎగ్జాస్ట్ ఫ్యాను వేసి, దాని తలుపు కాస్త తెరిచి, ఎదుటి కిటికీని నాలుగు వేళ్ల మందం తీసి, గుమ్మం దగ్గర ఒక పత్తి పోగు పట్టుకో. అది బాత్రూము వైపు వాలితే గదిలో గాలి మారుతున్నట్టు. నిటారుగా వేలాడితే ఫ్యాను ఊరికే మోగుతున్నట్టు. మీరు చేరిన తర్వాత కూడా ఏసీ వేయబోయే ముందు ఇరవై నిమిషాలు, ఆపిన వెంటనే ఇరవై నిమిషాలు ఇలా చేయండి. కరెంటు బిల్లు గురించి మీ నాన్న గొణిగితే నా పేరు చెప్పు.

జాలీలు పదిహేను రోజులకోసారి కడుగు. రూమ్ ఫ్రెషనర్లు, కలరా ఉండలు కొత్త అలమరాల్లో పెట్టకు. అవి మరో ఆవిరిని చేరుస్తాయి. గాలిని శుభ్రం చేసే యంత్రంలోని హెపా ఫిల్టరు దుమ్మును పడుతుంది గాని ఆవిరిని పట్టదు. దానికి ఆవిరిని పీల్చుకునే బొగ్గు, అంటే యాక్టివేటెడ్ కార్బన్ కావాలి, అదైనా మామూలుది ఫార్మాల్డిహైడ్‌ను సరిగా పట్టదు. ఓజోన్ వదిలే యంత్రాన్ని మాత్రం ఎవరు ఉచితంగా ఇచ్చినా గుమ్మం దాటనివ్వకు.

ఇంకొకటి, వృత్తివాళ్లకు తప్ప ఎవరికీ పట్టని సంగతి. చెక్క, జిగుర్లు, కొన్ని క్లీనర్ల నుంచి ఫార్మిక్, అసిటిక్ ఆమ్లాలు ఆవిరిగా వస్తాయి. తేమతో కలిసి రాగి కాయిల్‌ను లోలోపల తొలుస్తాయి. ఆ గొట్టాన్ని కోసి భూతద్దంలో చూస్తే తొలిచిన రంధ్రాలు చీమల పుట్టలో దారుల్లా ఉంటాయి. కాబట్టి కొత్త ఇంటి ఏసీలో ఏడాది తిరక్కుండా గ్యాసు పోయిందంటే, మెకానిక్‌ను తిట్టే ముందు ఆ గది గాలిని కూడా అనుమానించు.

గృహప్రవేశం ముహూర్తాన్ని మార్చమనను. ఆ రోజు పాలు పొంగించి, భోజనాలు పెట్టి, మళ్లీ అద్దె ఇంటికే వెళ్లండి. వచ్చే నెల మొదటి వారంలో నేనే వస్తాను. నేను వచ్చేదాకా పడకగది అలమరాల్లో బట్టలు సర్దకు; వాటి తలుపులన్నీ బార్లా తెరిచే ఉంచు. పత్తి పోగు నా జేబులో ఉంటుంది.

ఇట్లు,
నీ పెదనాన్న