మేనకోడలికి మామయ్య ఉత్తరం: ఒక్క ఓటు మీద నిలిచే సభలో ఉద్యోగం

విన్నిపెగ్,
ఆగస్టు 2017

చిరంజీవి అమ్మలుకు మామయ్య ఆశీర్వదించి రాయునది.

నువ్వు వాంకూవర్‌లో బ్యాంకు ఉద్యోగం మానేసి, బ్రిటిష్ కొలంబియా రాజధాని విక్టోరియాలో ఒక ఎన్‌డీపీ (న్యూ డెమోక్రటిక్ పార్టీ) శాసనసభ్యుడి దగ్గర సహాయకురాలిగా చేరుతున్నావని మీ అమ్మ నిన్న ఫోనులో చెప్పింది. చెబుతూ చెబుతూ ఏడ్చేసింది. నాకు మాత్రం సంతోషంతో కాసేపు మాట రాలేదు. మన ఇంటి పిల్ల శాసనసభ మెట్లెక్కుతోంది! కాల్గరీలో మన ప్రసాద్ పండా గారు 2015 ఉప ఎన్నికలో గెలిచినప్పుడు ఎంత పొంగిపోయానో, నిన్న అంతకు రెట్టింపు పొంగిపోయాను. కానీ ఫోను పెట్టేశాక నిద్ర పట్టలేదు. 87 మంది ఉన్న మీ సభలో మే ఎన్నికల్లో లిబరళ్లు 43, ఎన్‌డీపీ 41, గ్రీన్ పార్టీ వాళ్లు 3. గ్రీన్లను కలుపుకున్నా మీ ప్రభుత్వానికి 44 మందే. రాత్రంతా ఈ అంకెలే బుర్రలో తిరిగాయి.

మీ అమ్మ భయం వేరు. శాసనసభ అనగానే తనకు 1984 ఆగస్టు గుర్తుకొస్తుంది. రామారావు గారిని దించేసి నాదెండ్ల భాస్కరరావును ముఖ్యమంత్రిని చేసినప్పుడు, తెలుగుదేశం ఎమ్మెల్యేలను కర్ణాటకకు తరలించి కాపాడుకున్న రోజులవి. పిల్లను అలాంటి చోటికి ఎలా పంపమంటావని నన్ను నిలదీసింది. అక్కడ క్యాంపులు ఉండవక్కా అని ధైర్యం చెప్పాను. అయితే నీకు ఇంకొక మాట కూడా చెప్పాలి. మన దేశంలో 1985లో వచ్చిన ఫిరాయింపుల నిరోధక చట్టం లాంటిది బ్రిటిష్ కొలంబియాలో లేదు. సభ్యుడు పార్టీని కాదని ఓటేస్తే పార్టీ వెళ్లగొట్టవచ్చు, సీటు మాత్రం పోదు. అందుకే అక్కడ ప్రతి సభ్యుడి మనసులో ఏముందో తెలుసుకోవడం ఇంకా ముఖ్యం.

మామూలు సంగతులు నీకు నేను చెప్పనక్కర్లేదు. సభా నియమాల పుస్తకం మొదటి వారంలోనే చదివెయ్యి. ఎవరినీ పేరు పెట్టి తిట్టకు. ఈమెయిల్‌లో రాసిన ప్రతి మాటా ఏదో ఒకరోజు పేపరులో వస్తుందనుకుని రాయి.

ప్రయాణం సంగతి మాత్రం గట్టిగా చెబుతాను. మీ సభ్యుడి నియోజకవర్గం వాంకూవర్ వైపు, సభేమో ద్వీపం మీద. ఫెర్రీలో గంటన్నర పైనే పడుతుంది, స్వార్ట్జ్ బేలో దిగాక ఊళ్లోకి మరో అరగంట. నీళ్ల మీద దిగే చిన్న విమానాలు త్వరగానే తీసుకెళతాయి గాని, పొగమంచు పట్టిందంటే ఎగరవు. శరదృతువులో ఆ తీరంలో పొగమంచు ఎప్పుడు కమ్ముతుందో ఎవరూ చెప్పలేరు. ఓటింగు ఉన్న రోజు ఉదయం బయలుదేరడం అనే మాటే వద్దు. ముందురోజు రాత్రికే మీ సభ్యుడు విక్టోరియాలో భోంచేసి పడుకోవాలి. ఆయనకు కోపం వచ్చినా సరే, పిల్లల పుట్టినరోజు అన్నా సరే. జలుబు చేస్తే మందులు కూడా నువ్వే కొనిపెట్టు. మెజారిటీ ప్రభుత్వంలో వెనక వరుస సభ్యుడు ఒక పూట రాకపోతే ఎవరూ పట్టించుకోరు. మీ సభలో అదే పూట ప్రభుత్వం పడిపోవచ్చు.

నేను అతిగా భయపడుతున్నానని అనుకుంటావేమో. లెక్క చూడు. ఎన్నికల రాత్రి కోర్ట్నీ-కోమాక్స్‌లో ఎన్‌డీపీ ఆధిక్యం తొమ్మిది ఓట్లు. అన్నీ లెక్కించాక 189 అయింది. ఆ ఒక్క సీటు అటు పోయి ఉంటే లిబరళ్లకు 44 వచ్చేవి, క్రిస్టీ క్లార్క్ ఈరోజుకీ ముఖ్యమంత్రిగానే ఉండేవారు. జూన్ 29న ఆమె ప్రభుత్వం 44-42తో ఓడింది. లిబరళ్లలో ఒకరు స్పీకర్ కుర్చీలో ఉండబట్టి వాళ్ల ఓట్లు 42కు దిగాయి. ఆ స్పీకర్ వెంటనే రాజీనామా చేశారు. ఇప్పుడు ఆమె తర్వాత ముఖ్యమంత్రి అయిన ఎన్‌డీపీ నాయకుడు జాన్ హోర్గన్ వైపు నుంచి ఎవరైనా ఆ కుర్చీ ఎక్కితే ఇటు మిగిలేది 43. క్లార్క్ ఖాళీ చేసిన సీటును లిబరళ్లే మళ్లీ గెలుచుకుంటే అటూ 43. ఇక ప్రతి బిల్లుకూ స్పీకర్ ఓటే దిక్కు.

ఇప్పుడు అసలు సంగతికి వస్తాను. నీకు తెలిసిన మామయ్య పదవీ విరమణ చేసి తోటపని చేసుకునే మనిషి. కానీ 1988లో నేను ఇక్కడి మానిటోబా శాసనసభలో హన్సార్డ్ విభాగంలో ఉండేవాణ్ణి. సభలో మాట్లాడిన ప్రతి మాటనూ చెవులకు ఇయర్‌ఫోన్లు తగిలించుకుని వినడం, టైపు చేయడం, ఇదే ఉద్యోగం. ఆ సభ గుర్రపు నాడా ఆకారంలో, మెట్లు మెట్లుగా కిందికి దిగి ఉంటుంది. నేను చూసింది తక్కువ, విన్నది ఎక్కువ. ఎవరు తరచూ మాట్లాడతారో, ఎవరి గొంతు నెలల తరబడి వినిపించదో నాకు బాగా తెలిసేది.

1986 ఎన్నికల్లో హోవార్డ్ పాలీ నాయకత్వంలో ఎన్‌డీపీకి 57లో 30 సీట్లు వచ్చాయి. అంటే మెజారిటీయే. కాని ఎంత మెజారిటీ? ఒకరు స్పీకర్. 1988 ఫిబ్రవరిలో లారెంట్ డెజార్డిన్స్ రాజీనామా చేశారు. ఇక మిగిలింది 28, ఎదురుగా 27. ఆ 28లో ఒకరు సెయింట్ వైటల్ సభ్యుడు జిమ్ వాల్డింగ్. 1971 నుంచి సభలో ఉన్న మనిషి. అంతకుముందు స్పీకర్‌గా చేశారు. ఫ్రెంచి భాష హక్కుల గొడవలో ప్రతిపక్షం సభకు రాకుండా, సభ్యులను ఓటింగుకు పిలిచే గంటలు పది రోజులకు పైగా మోగుతూనే ఉన్న కాలంలో ఆ కుర్చీలో ఉన్నది ఆయనే. అప్పుడు సొంత పార్టీ వాళ్లకే ఆయన మీద కోపం వచ్చింది. తర్వాత మంత్రి పదవి ఇవ్వలేదు. వెనక వరుసలో కూర్చోబెట్టారు.

ఆయన అసంతృప్తిగా ఉన్నారని సభలో అందరికీ తెలుసు. ప్రభుత్వ వాహన బీమా ఆటోపాక్ రేట్లు పెంచారని ఊరంతా మండిపడుతోంది కూడా. అయినా కారిడార్లలో నేను పదే పదే విన్న మాట ఒక్కటే: ఎక్కడికి పోతాడులే. అమ్మలూ, ఆ మాటే నన్ను ఇప్పటికీ భయపెడుతుంది. ఆయన పక్కన కూర్చుని నిజంగా ఏం కావాలో అడిగిన పెద్దమనిషి ఎవరూ నాకు కనిపించలేదు. ఇంత పలచని మెజారిటీ మీద కూర్చున్నవాళ్లు చేయకూడని తప్పు అది. సిద్ధాంతాలూ పథకాలూ ఎన్ని ఉన్నా, పక్క బల్ల మీద మనిషి మౌనంగా ఉన్నాడని గమనించకపోతే ఏం లాభం?

మార్చి 8న బడ్జెట్ మీద ఓటింగు. ఆ టేపు నా దాకా వచ్చింది. గుమాస్తా పేర్లు చదువుతున్నారు, ప్రతి పేరుకూ మధ్య చిన్న విరామం. ప్రతిపక్షం వైపు పేర్లలో వాల్డింగ్ పేరు వచ్చింది. ఒక్క క్షణం ఏమీ లేదు. తర్వాత సభంతా ఒక్కసారిగా లేచిన హోరు, బల్లల చప్పుడు. పేరు సరిగ్గానే విన్నానా అని టేపు వెనక్కి తిప్పి మళ్లీ విన్నాను. 28-27. ప్రభుత్వం పడిపోయింది. పాలీ నాయకత్వం నుంచి తప్పుకున్నారు. ఏప్రిల్ 26 ఎన్నికల్లో ఎన్‌డీపీ 12 సీట్లకు పడిపోయి మూడో స్థానానికి దిగింది. నాకు తెలిసిన సహాయకులు, నీ ఈడు పిల్లలు, పెట్టెల్లో కాగితాలు సర్దుకుని చలిలో బయటికి నడిచారు. వాళ్లలో ఏ ఒక్కరి తప్పూ లేదు.

వాల్డింగ్ చేసింది ద్రోహమని కొందరంటారు, మనస్సాక్షి అని కొందరంటారు. నా ఉద్దేశంలో, ఒక మనిషి మీదే అంతా ఆధారపడి ఉందని తెలిసీ ఆయన్ని ఒంటరిగా వదిలేసినవాళ్లదే ఎక్కువ బాధ్యత. మీ సభ్యుడు మంత్రి కాదు. మంత్రి పదవి రాలేదన్న బాధ ఆయనకూ ఉండవచ్చు. ఆయన కోప్పడితే కంగారుపడకు, విను. ఎప్పుడూ మాట్లాడే మనిషి పార్టీ సమావేశం నుంచి వచ్చి మాట్లాడకుండా కూర్చుంటే, అప్పుడు తలుపు వేసి అడుగు. పరిష్కరించడం నీ వల్ల కాదనిపిస్తే విప్‌తో ఒకసారి మాట్లాడమని ఆయనకే చెప్పు. ఆయన వెనకాల నువ్వు వెళ్లి చెప్పకు.

ఒక్క సభ్యుడి బలం చెడుకే పనికొస్తుందని అనుకోకు. ఆ ఎన్నికల తర్వాత వచ్చిన గ్యారీ ఫిల్మన్ ప్రభుత్వం మైనారిటీదే: 57లో 25. 1990 జూన్‌లో క్యూబెక్‌కు ప్రత్యేక గుర్తింపు ఇచ్చే మీచ్ లేక్ రాజ్యాంగ ఒప్పందాన్ని గడువులోగా సభ ముందుకు తేవాలంటే అందరి సమ్మతీ కావాల్సి వచ్చింది. మూడు పార్టీల నాయకులూ సరేనన్నారు. ఎలైజా హార్పర్, రెడ్ సకర్ లేక్ నుంచి వచ్చిన ఆదివాసీ సభ్యుడు, చేతిలో గద్ద ఈక పట్టుకుని లేచి కాదన్నారు. మర్నాడూ కాదన్నారు. ఆ ఒప్పందంలో తన ప్రజలకు చోటు లేదన్నది ఆయన బాధ. అరవలేదు, తిట్టలేదు. అంత చిన్న గొంతుతో చెప్పిన మాట దేశమంతా వినిపించింది. ఆయన చేతిలో ఉన్న ఆయుధమల్లా సభా నియమాలే. ఆ పుస్తకం చదవమని మొదట్లో ఒక ముక్కలో చెప్పానే, అది అందుకే.

గ్రీన్లతో మీ ఎన్‌డీపీ మే 30న చేసుకున్న ఒప్పందం కూడా దగ్గర పెట్టుకో. విశ్వాస పరీక్షలోనూ బడ్జెట్‌లోనూ మద్దతిస్తామన్నారు అంతే. మిగతా బిల్లుల మీద వాళ్ల ఇష్టం వాళ్లది. సైట్ సి ఆనకట్ట మీద వాళ్లకూ మీ వాళ్లకూ పొత్తు కుదరని రోజు రావచ్చు. గ్రీన్ల సహాయకులు ముగ్గురో నలుగురో ఉంటారు. వాళ్లతో స్నేహంగా ఉండు, వాళ్లను చిన్నచూపు చూడకు.

నియోజకవర్గం ఫోన్లు వదలకు. ఆసుపత్రి తేదీ కోసం తిరుగుతున్న ముసలాయనకు విక్టోరియాలో ఎవరి లెక్క ఎంతో అక్కర్లేదు.

ఇల్లు నెలవారీ అద్దెకే తీసుకో, ఏడాది ఒప్పందం రాయకు. ఆరు నెలల ఖర్చుకు సరిపడా డబ్బు పక్కన ఉంచు. గ్రీన్లతో ఒప్పందంలో నాలుగేళ్లని రాసుకున్నా, 1990లో ఫిల్మన్ రెండేళ్లకే ఎన్నికలకు వెళ్లి మెజారిటీ తెచ్చుకున్నారు. నాయకులకు గాలి అనుకూలంగా ఉందనిపిస్తే కాగితాలు ఆపలేవు. ఉద్యోగం పోతే నేరుగా ఇక్కడికి వచ్చెయ్యి. పై గది ఖాళీగానే ఉంది. మీ అత్తయ్య ఈ ముక్క రాయకుండా ఉత్తరం ముగించవద్దంది.

సెప్టెంబరులో సభ మొదలవుతుందంటున్నారు. స్పీకర్ ఎవరవుతారో తెలుసుకోవాలని నాకూ ఆత్రంగానే ఉంది. పాత అలవాటు కొద్దీ ఫోనులో నిన్ను అడుగుతాను కూడా. చెప్పకు. లోపలి మాట ఒక్కటి కూడా నాకు చెప్పకు, మీ అమ్మకు అసలే చెప్పకు. వేళకు తిన్నావో లేదో చెప్పు, మాకు అది చాలు.

ఆశీస్సులతో
మామయ్య