ఆ ఆవర్జాను అంత త్వరగా మూయకండి

కర్నూలు

ప్రియమైన యువమిత్రునికి,

రైతుల పంట కొంటూ, వాళ్లకు అప్పులిస్తూ మీ తాతలు నడిపిన మండీ గురించి, దాన్నుంచి మీకు వచ్చిన ఆస్తి గురించి మీరు తీస్తున్న డాక్యుమెంటరీ స్క్రిప్టు చదివాను, దానితోపాటు వచ్చిన రఫ్ కట్ (తొలి కూర్పు) కూడా చూశాను. ఆదోని యార్డులో పొద్దున్నే పత్తి దిగడం, హమాలీలు, వేలం పాట వీటిని తొందరపడకుండా తీశారు. వ్యాఖ్యానం రాసే చెయ్యి మీకుంది. నన్ను ఊరుకోనివ్వని విషయం వేరే ఉంది కనుక ప్రశంసలు ఇక్కడితో ఆపుతాను.

సినిమా సగానికి వచ్చేసరికి మీరు మీ జేజినాయన, అంటే తాతగారి గదిలోని ఇనప్పెట్టె తెరిచారు. ఎర్రగుడ్డ అట్ట వేసిన ఆవర్జా, అంటే పేరుపేరునా బాకీలు రాసే ఖాతా పుస్తకం, బయటికి వచ్చింది. పుట పైన పసుపు కుంకుమ, 'శ్రీ', దాని కింద కోసిగి వైపు ఒక పల్లె పేరు, ఒక మనిషి పేరు, ఆ కింద వరుసగా అంకెలు. నేను కుర్చీలో ముందుకు జరిగాను. ఆ పేరు ఎవరిదో, ఆ అంకెలు ఎలా పెరిగాయో ఇప్పుడు చెబుతారని ఎదురుచూశాను. మీరు రెప్పపాటులో ఆవర్జా మూసి, ఆదోని కోట కొండెక్కి, సాయంకాలపు ఎండలో నిలబడి, అడగకుండా వచ్చిన సంపద బరువు గురించి మాట్లాడటం మొదలుపెట్టారు. వెనక వయొలిన్ వాయించారు. నాకు కోపం వచ్చింది. ఈ ఉత్తరం ఆ కోపంలోంచే పుట్టింది కనుక కొన్ని మాటలు కటువుగా ఉంటే ఓర్చుకోండి.

తాతల ఆస్తి గురించి మాట్లాడదలచుకున్న వారసుడు మొదట లెక్క చూపించాలి, మనసు తర్వాత చూపించవచ్చు. నేను ఇంతకాలం రాసింది, వాదించింది, పోట్లాడింది ఈ ఒక్క మాట కోసమే. మీ బాధ నిజమైనదే కావచ్చు, నేను దాన్ని శంకించడం లేదు. కానీ ఆస్తి ఉన్నవాడి బాధను చూపించడానికి ఏ సాక్ష్యమూ అక్కరలేదు, ముఖం మీద వెలుతురు పడితే చాలు. ఆ ఆస్తి ఎలా పోగయిందో చూపించడానికి మాత్రం కాగితం కావాలి. ఆ కాగితం మీ ఇంట్లో ఉంది, నాలాంటివాళ్ల ఇళ్లలో లేదు. మా దగ్గర ఉండేది మహా అయితే చిరిగిపోయిన తక్‌పట్టీ, పంట అమ్మినప్పుడు మండీలో ఇచ్చే లెక్క చీటీ.

మా నాయనది పత్తికొండ వైపు ఎర్రనేల, వేరుశనగచేను. విత్తనాలకు, ఎరువుకు మండీలో పెట్టుబడి తెచ్చుకుంటే, పంట ఆ మండీకే తోలాలి, ఆ షావుకారు చెప్పిన ధరకే ఇవ్వాలి. కాయలు అమ్ముకొని వచ్చిన రాత్రి, ఇంట్లో చదువు వచ్చినవాణ్ణి నేనొక్కణ్ణే కనుక, తక్‌పట్టీ నా చేతికిచ్చి చదవమనేవాడు. పైన సరుకు మొత్తం విలువ పెద్ద అంకెగా ఉండేది. దాని కింద తరుగు, హమాలీ, దలాలి, ధర్మం, పెట్టుబడి అసలు, దానిమీద వడ్డీ, పాతబాకీ. నేను ఒక్కొక్కటి చదువుతుంటే మా నాయన తల ఊపేవాడు, ఏది ఎందుకు పట్టుకున్నారని ఒక్కసారి కూడా అడగలేదు. చివరి వరుసలో మాకు రావలసిన సొమ్ము బదులు మేము ఇంకా ఇవ్వవలసిన సొమ్ము ఉండేది. మా అమ్మ పొయ్యి దగ్గర నుంచి లేవకుండానే ఆ చివరి అంకె ఎంతో చెప్పమనేది.

నేను రాసిన తొలి కథల్లో ఒకదాంట్లో ఆ తక్‌పట్టీని ఒక్క పద్దు కూడా వదలకుండా పెట్టాను. పేరున్న ఒక వారపత్రిక సంపాదకుడు, ఆ లెక్కంతా తీసేసి తల్లి దుఃఖాన్ని పెంచితే వేసుకుంటానని జాబు రాశాడు. నేను తీయలేదు, ఆయన వేయలేదు. చాలా కాలం తర్వాత అది ఒక చిన్న పత్రికలో వచ్చింది. చదివిన రైతులు కొందరు ఆ పద్దులన్నీ నిజమేనని చెప్పడానికి మా ఇంటికి వచ్చారు. సీమ నుంచి ఏది వచ్చినా అందులో కత్తి ఉందా, కరువు ఉందా అని మాత్రమే వెతికే సంపాదకుల మీద నాకున్న కోపం ఈనాటికీ తగ్గలేదు. ఇప్పుడు ఆ పని సిరీస్‌లు తీసేవాళ్లు చేస్తున్నారు. వేటకొడవలి పట్టినవాడి గురించి అడుగుతారు తప్ప, కలం పట్టి అప్పు నోటు రాసినవాడి గురించి అడగరు. ఆ కలం ఉన్న ఇంట్లో పుట్టి, దాని గురించి మాట్లాడతానని ముందుకొచ్చిన మీరు కూడా కొండెక్కి వయొలిన్ వాయిస్తే నేనెలా ఊరుకోగలను?

మీ వ్యాఖ్యానంలో 'అప్పులు పెరిగాయి' అన్న వాక్యం ఉంది. అప్పు దానంతట అది పెరగదు. ప్రామిసరీ నోటుకు మూడేళ్లలో కాలదోషం పడుతుంది, అంటే ఆ తర్వాత కోర్టుకెళ్లి వసూలు చేసుకోవడం కుదరదు. కనుక మూడేళ్లు నిండే లోపు షావుకారు బాకీదారుణ్ణి పిలిపించి, అసలుకు వడ్డీ కలిపి, మొత్తాన్ని కొత్త అసలుగా వేరే నోటు రాయిస్తాడు. నూటికి నెలకు రెండు రూపాయల వడ్డీ మీద 1,000 రూపాయల నోటు తీసుకోండి. మూడేళ్లకు 720 వడ్డీ చేరి 1,720 అవుతుంది. తిరగరాసిన రెండో నోటు మరో మూడేళ్లకు 2,958 అవుతుంది. మూడోది తిరగరాసే నాటికి, అంటే మొత్తం తొమ్మిదేళ్లకు, 5,088 రూపాయలు. ఈ తొమ్మిదేళ్లలో రైతు చేతికి కొత్తగా ఒక్క రూపాయి కూడా వచ్చి ఉండదు, రెవెన్యూ స్టాంపు మీద అతని వేలిముద్ర మాత్రం మళ్లీ మళ్లీ పడి ఉంటుంది. తిరగరాయడం కుదరకపోతే, ఏ పండగ పూటో ఐదో పదో పుచ్చుకుని నోటు వెనక చెల్లు వేయించి వేలిముద్ర తీసుకుంటే, అక్కడి నుంచి మళ్లీ మూడేళ్ల గడువు దొరుకుతుంది. మీ జేజినాయన పెట్టెలో ఆ నోట్లు ఉంటే వాటిని బోర్లా తిప్పి వెనకవైపు తీయండి. ఒక నోటు ముందు, వెనక, దాని తర్వాత నోటు ముందు, వెనక చూపిస్తూ అంకెలు మాత్రం చదివితే చాలు, మీరు కొండెక్కనవసరం లేదు.

అలాగే ఆవర్జాలో 1977 దగ్గర ఆగండి. చిన్న రైతులు, వ్యవసాయ కూలీలు, చేతివృత్తులవాళ్ల అప్పులను రద్దుచేస్తూ ఆ ఏడాది ఆంధ్రప్రదేశ్‌లో రుణ విమోచన చట్టం వచ్చింది. దాని తర్వాత మీ పుస్తకంలో ఆ పద్దులు ఏమయ్యాయి? కొట్టివేశారా, కొడుకు పేరు మీద కొత్త నోటుగా మారాయా, పొలానికి క్రయపత్రంగా మారాయా? మూడింటిలో ఏది జరిగిందో నేను ఇక్కడ కూర్చొని చెప్పలేను, మీరు చెప్పగలరు. కొట్టివేసి ఉంటే అది మీ జేజినాయనకు గౌరవం, ఆ మాట కూడా సినిమాలో గట్టిగా చెప్పండి. నేను అడుగుతున్న లెక్క ఆయనను దోషిగా నిలబెట్టడానికి కాదు.

మీకు ప్రేరణ ఇచ్చినవాడిగా జేమీ జాన్సన్‌ను పేర్కొన్నారు. జాన్సన్ అండ్ జాన్సన్ కంపెనీని 1886లో న్యూజెర్సీలో స్థాపించిన కుటుంబంలో పుట్టి, తన ఇరవై ఒకటో పుట్టినరోజుకు ఆస్తి చేతికి రాబోతుండగా, తనలాంటి వారసులనే కెమెరా ముందు కూర్చోబెట్టి డబ్బు గురించి అడిగాడు. 2003లో వచ్చిన ఆ 'బార్న్ రిచ్' నేనూ చూశాను. డబ్బున్న ఇళ్లలో డబ్బు గురించి మాట్లాడకూడదన్న కట్టుబాటును అతను ధైర్యంగా దాటాడు. మాట్లాడినవాళ్లలో ఒకడు తర్వాత అతని మీద కోర్టుకెక్కి ఓడిపోయాడు. నేనేం చేయాలని అడిగిన జాన్సన్‌కు అతని తండ్రి పాత పటాలు, పత్రాలు సేకరించుకోవచ్చని సలహా ఇవ్వడం నాకు ఇప్పటికీ కళ్లకు కట్టినట్టుంది. అయినా ఆ సినిమాలో వారసుల మాటలే ఉన్నాయి, ఆ డబ్బు ఎవరి కష్టంలోంచి వచ్చిందో లేదు. 2006 నాటి 'ది వన్ పర్సెంట్' నాకు అంతకంటే విలువైనదిగా తోచింది, ఎందుకంటే అందులో అతను తన బాధ వదిలి వ్యవస్థను నిలదీశాడు. మిల్టన్ ఫ్రీడ్‌మన్ అంతటి ఆర్థికవేత్త ఆ ప్రశ్నలకు విసుగెత్తి ఇంటర్వ్యూను మధ్యలోనే ముగించేశాడు.

అయితే ఆ అబ్బాయిని మీరు అనుకరించలేరు, అనుకరించకూడదు కూడా. అతని సంపద షేర్లుగా, ట్రస్టులుగా అనేక చేతులు మారి వచ్చింది. దాని రెండో కొస ఎక్కడుందో వెతకాలంటే అతను ప్రపంచమంతా తిరగాలి. మీ సంపద రెండో కొస కోసిగిలో, కౌతాళంలో, పెద్దకడుబూరులో ఉంది, పొద్దున బస్సెక్కితే మధ్యాహ్నానికి తిరిగి ఇల్లు చేరవచ్చు. ఆవర్జాలో ఉన్న మనుషుల మనవళ్లు ఈ ఏడాది కూడా ఇళ్లకు తాళాలు వేసి, పిల్లలను వెంటబెట్టుకుని, గుంటూరు వైపు మిరపకాయలు కోయడానికి సుగ్గికి, అంటే వలస కూలికి, పోతారు. మీకున్న ఈ దగ్గరితనం జాన్సన్‌కు లేదు.

ఇంకొక తేడా కూడా ఉంది. అక్కడ వారసత్వపు ఆస్తి మీద ప్రభుత్వం పన్ను వేస్తుంది. అది ఉండాలా వద్దా అన్న వాదన ఆ రెండో సినిమాలో కూడా వినిపిస్తుంది. మన దేశంలో చనిపోయినవారి ఆస్తి మీద 1953లో తెచ్చిన పన్నును, ఎస్టేట్ డ్యూటీని, 1985లో ఎత్తివేశారు, సంపద పన్నును 2015 బడ్జెట్‌లో తీసేశారు. తండ్రి నుంచి కొడుకుకు ఎంత ముట్టిందో మొత్తంగా ఒకచోట రాసి చూపించవలసిన అవసరం ఇక్కడ ఎవరికీ లేదు. కనుక మన ఊళ్లలో ఆస్తి ఎలా చేతులు మారిందో చెప్పగల సాక్ష్యం చాలావరకు మీవంటి ఇళ్ల ఇనప్పెట్టెల్లోనే మిగిలింది. చెదలు పట్టకముందే దాన్ని తెరవగలిగింది కూడా మీలాంటివాళ్లే.

మీ సినిమాలో నన్ను నిజంగా కదిలించినది మీ జేజి, అంటే మీ నాయనమ్మ మాట. పెళ్లిలో తన మెడలో వేసిన చంద్రహారం పెట్టెలోని కుదువ సొమ్మేనని చెబుతూ, "అది ఎవురిదని నేనడగల్యా. అడిగింటే తీసేయాల్సి వొస్తుండె" అన్నది. ఆ తర్వాత పైట కొసను వేలికి చుట్టుకుంటూ కెమెరా వైపు కాక మీ వైపు చూసింది. మీరు అక్కడ వెంటనే కట్ చేశారు. ఆమె ఇంకా చెప్పేది, ఆ చూపు అలాంటిది. ఆమె దగ్గరికి మళ్లీ వెళ్లండి. కొత్త ప్రశ్నలు వేయకుండా ఆ హారం ఆమె చేతికిచ్చి కూర్చోండి.

అదే సంభాషణలో మీకు ఇద్దరు మేనత్తలున్నారని ఆమె నోటనే తెలిసింది. సినిమాలో మరెక్కడా వాళ్ల ఊసు లేదు. ఉమ్మడి కుటుంబ ఆస్తిలో కూతుళ్లకు కొడుకులతో సమానంగా వాటా ఇస్తూ మన రాష్ట్రం చేసిన సవరణ 1985 సెప్టెంబరు 5 నుంచి అమలైంది, కానీ అప్పటికే పెళ్లయినవాళ్లకు అది వర్తించలేదు. కేంద్ర సవరణ 2005లో వచ్చింది. మీ మేనత్తల పెళ్లిళ్లు ఆ 1985 తేదీకి ముందా, తర్వాతా? తర్వాతైతే పసుపు కుంకుమల పేరుతో ఏదో ముట్టజెప్పి హక్కు వదులుకున్నట్టు సంతకాలు తీసుకున్నారా? వారసత్వం గురించిన సినిమాలో వారసత్వం రానివాళ్లు లేకపోతే అది సగం సినిమానే. వాళ్లు మాట్లాడనంటే, మాట్లాడనన్నారని చెప్పండి.

ఇక చివరి దృశ్యం తీసేయమని గట్టిగా చెబుతున్నాను. ఒక ముసలి రైతు మంచం మీద కూర్చొని ఆయన చేతులు పట్టుకుని మీరు కన్నీళ్లు పెట్టుకున్నారు. ఆయన ఏం చేయాలో తెలియక మీ వీపు నిమిరాడు. మీ కుటుంబానికి బాకీ కట్టిన ఇంటి మనిషి చేత మిమ్మల్ని ఓదార్పించుకోవడం అన్యాయం, మీకు ఆ ఉద్దేశం లేకపోయినా అన్యాయమే. పైగా ఆయన పేరు తెర మీద ఎక్కడా వేయలేదు. ఆయన ఇంటికి మళ్లీ వెళ్లేటప్పుడు ఆవర్జాలో వాళ్ల పద్దు నకలు తీసుకెళ్లండి, ఇంట్లో చదివేవాళ్లుంటే వాళ్ల చేత చదివించండి. వాళ్లు ఒప్పుకుంటే ఆ పేరు, ఆ అంకెలు సినిమాలో పెట్టండి, ఒప్పుకోకపోతే పల్లె పేరుతో సహా కప్పేయండి. కోప్పడితే కోప్పడనివ్వండి, ఆ కోపాన్ని ఎడిటింగులో మెత్తబరచకండి.

మీ నాన్నగారు ఈ సినిమాకు ఒప్పుకోవడం లేదని రాశారు. ఆయనతో వాదించి గెలవాలని చూడకండి. ఆయన అభ్యంతరాన్ని ఆయన మాటల్లోనే, ఆయన కోరినంత నిడివిలో చెప్పించండి. మండీ లేకపోతే ఆ ఎర్రనేలల రైతుకు విత్తనం పెట్టుబడి ఎవరిచ్చేవారని ఆయన అడిగితే అది న్యాయమైన ప్రశ్న. బ్యాంకు గడప ఎక్కలేని మా నాయనకు విత్తనాలు ఇచ్చినది మండీయే. ఆ ప్రశ్నకు జవాబు మీ దగ్గర లేకపోతే లేదన్నట్టే వదిలేయండి.

పాత పుటల్లో సగం గొలుసుకట్టు రాతలో, అంటే అక్షరాలు కలిపి రాసే పాత రాతలో, ఉన్నట్టు రఫ్ కట్‌లో కనిపించింది, ఆవర్జాను అంత త్వరగా మూయడానికి అదీ ఒక కారణమేమోనని అనుమానం. మా తరంలో ఆ రాత చదవగలిగినవాళ్లం కొందరం ఇంకా ఉన్నాం. 1970 నుంచి 1985 దాకా ఉన్న పుటలను ఫోటోలు తీసి పంపండి, నోట్లు ఉంటే రెండు వైపులా తీయండి. పద్దు పద్దుగా మామూలు తెలుగులో రాసి పంపుతాను. ఎండాకాలమంతా కర్నూలులోనే ఉంటాను. ఆవర్జా పోస్టులో పంపవద్దు, మీరే తీసుకువస్తే మంచిది.

ఆశీస్సులతో,
మీ శ్రేయోభిలాషి