చిన్న క్రైస్తవ విశ్వవిద్యాలయం స్థాపించాలంటే మొదట ఏం సమకూర్చుకోవాలి?

మీ సంఘస్తులు కొందరు కలిసి ఒక చిన్న ప్రైవేటు క్రైస్తవ విశ్వవిద్యాలయం పెట్టాలనుకుంటున్నారని, ముందు స్థలం కొనాలా, ప్రభుత్వ అనుమతికి వెళ్లాలా అని అడిగారు. ఆ రెండింటికంటే ముందు పాఠం చెప్పే మనుషులను చూసుకోవాలన్నది నా గట్టి నమ్మకం. అది నాకు ఎలా కుదిరిందో చెప్పాలంటే మా ఊళ్లో జరిగిన ఒక సమావేశం గురించి చెప్పాలి.

మాది గుంటూరు జిల్లా. మా నాన్నగారు ముప్పై ఏళ్లకు పైగా పాస్టరుగా పనిచేశారు. ఆయన విశ్రాంతి తీసుకున్న కొన్నేళ్లకు, అచ్చం మీలాంటి ఆలోచనతోనే సంఘపెద్దలు పదిహేను మంది ఒక ఆదివారం ఆరాధన ముగిశాక మందిరం పక్కగదిలో కూర్చున్నారు. బల్ల మీద ముఖద్వారం ఆర్చి నమూనా పరిచి, ఫ్యాను గాలికి ఎగరకుండా నాలుగు మూలలా పాటల పుస్తకాలు పెట్టారు. ఆర్చి మీద పేరు తెలుగులో పైన ఉండాలా, ఇంగ్లీషులో పైన ఉండాలా అన్న చర్చ భోజనాల వేళ దాటేదాకా సాగింది. ఛాన్సలర్ ఎవరన్నది కూడా తేలిపోయింది. అప్పటిదాకా నోరు విప్పని నాన్నగారు, "అయ్యా, మొదటి రోజు మొదటి గంట పాఠం ఎవరు చెబుతారు? ఏ పుస్తకంలోంచి చెబుతారు?" అని అడిగారు. "అవన్నీ తర్వాత వాటంతట అవే వస్తాయి అయ్యగారూ" అన్నారు ఒక పెద్దాయన.

నాన్నగారు నన్ను ఇంటికి పంపి, ట్రంకుపెట్టెలో ఉన్న తన బి.డి. (బ్యాచిలర్ ఆఫ్ డివినిటీ, అంటే దైవశాస్త్ర డిగ్రీ) పట్టా తెప్పించారు. మడతల దగ్గర చిరుగుపట్టిన ఆ కాగితాన్ని ఆర్చి నమూనా మీదే పరిచి, సెరంపూర్ అన్న పేరు మీద వేలు పెట్టి, "నేను చదివింది హైదరాబాదు లోయర్ ట్యాంక్‌బండ్ రోడ్డులోని ఆంధ్ర క్రిస్టియన్ థియలాజికల్ కళాశాలలో. పట్టా మాత్రం బెంగాల్ నుంచి వచ్చింది. ఎందుకో ఎవరికైనా తెలుసా?" అన్నారు. ఆ తర్వాత అరగంట ఆయన చెప్పినదానికి, నేను చదివి రూఢి చేసుకున్న వివరాలు కలిపి ఇక్కడ రాస్తున్నాను.

హుగ్లీ నది ఒడ్డున, బారక్‌పూర్‌కు ఎదురుగా ఉన్న సెరంపూర్ అప్పట్లో డెన్మార్క్ వాళ్ల స్థావరం. ఈస్టిండియా కంపెనీ తన నేల మీద మిషనరీలను సహించకపోవడం వల్ల ఇంగ్లండు నుంచి వచ్చిన మిషనరీలు విలియం కేరీ, జాషువా మార్ష్‌మన్, విలియం వార్డ్ 1800లో అక్కడ కలిసి స్థిరపడ్డారు. కేరీ ఒకప్పుడు చెప్పులు కుట్టి బతికినవాడు. వార్డ్ అచ్చుపని తెలిసినవాడు. మార్ష్‌మన్, ఆయన భార్య హన్నా బడులు నడిపారు. కేరీకి కలకత్తాలోని ఫోర్ట్ విలియం కళాశాలలో పాఠం చెప్పినందుకు వచ్చే జీతంలో చాలా భాగం ఉమ్మడి ఖర్చుకే పోయేది. 1812లో అచ్చుశాల కాలిపోయి అక్షరాల దిమ్మలు, రాతప్రతులు బూడిదైతే, మళ్లీ మొదటినుంచి పని మొదలుపెట్టారు. మన భాషకు కేరీ రాసిన వ్యాకరణం 1814లో అచ్చయింది ఆ అచ్చుశాలలోనే. ఇలా పద్దెనిమిదేళ్లు బడులు, భాషలు, పుస్తకాలు పోగుచేసుకున్నాకే 1818లో కళాశాల తెరిచారు. మొదట చేరింది 37 మంది. వాళ్లలో క్రైస్తవులు 19 మంది, మిగిలినవాళ్లలో ఎక్కువమంది హిందువులు. బోధన ప్రాచ్య సాహిత్యంలోనూ, ఐరోపా శాస్త్రాల్లోనూ జరగాలని ముందే నిర్ణయించుకున్నారు.

పట్టా ఇచ్చే అధికారం ఆ తర్వాత వచ్చింది. మార్ష్‌మన్ కోపెన్‌హాగెన్ వెళ్లి అడిగితే, డెన్మార్క్ రాజు ఆరవ ఫ్రెడరిక్ 1827 ఫిబ్రవరి 23న అధికారపత్రం ఇచ్చాడు. 1823లోనే కన్నుమూసిన వార్డ్ దాన్ని చూడనేలేదు. కులం గానీ, రంగు గానీ, దేశం గానీ ఎవరి ప్రవేశానికీ అడ్డు కాకూడదని 1833 నాటి నిబంధనల్లో రాసుకున్నారు. 1845లో డెన్మార్క్ ఆ ఊరిని ఇంగ్లీషువాళ్లకు అమ్మినప్పుడు కూడా ఆ హక్కును ఒప్పందంలో నిలబెట్టారు. అంత గట్టి హక్కు చేతిలో ఉన్నా, దాని కింద మొదటి బి.డి. పట్టాలు ఇచ్చింది 1915లో, అంటే 88 ఏళ్ల తర్వాత. 1918లో బెంగాల్ శాసనసభ చేసిన చట్టంతో, పట్టాల వ్యవహారం చూసే సభ అయిన సెనేట్ ఏర్పడింది. నాన్నగారు చదివిన కళాశాల దానికి అనుబంధం కాబట్టే ఆయన పట్టా బెంగాల్ నుంచి వచ్చింది. మన పాస్టర్లు ఎంతోమంది ఈనాటికీ ఆ సెనేట్ పట్టాతోనే సేవలోకి వస్తున్నారు.

ఈ మాట వచ్చినప్పుడల్లా నాకు బాధ కలిగించే సంగతి ఒకటుంది. ఈమధ్య మన సంఘాల్లో గోడపత్రిక వేస్తే చాలు, ప్రసంగీకుల్లో సగం మంది పేర్ల ముందు "డాక్టర్" కనబడుతోంది. ఏదో బైబిలు యూనివర్సిటీ పేరుతో, ఒక హోటల్ హాల్లో, గౌను తొడిగి, రుసుము తీసుకుని ఇచ్చిన కాగితాలు వాటిలో చాలా ఉన్నాయి. కొత్త నిబంధన మూలభాష అయిన గ్రీకులో క్రియాపదాలు వల్లెవేస్తూ రాత్రుళ్లు గడిపి బి.డి. సంపాదించిన మా నాన్నగారిలాంటివాళ్లు ఆ వేదికల మీద చివరి కుర్చీలో కూర్చోవలసి రావడం నేను కళ్లారా చూశాను. ఇందులో తప్పు ఆ కాగితాలు పుచ్చుకున్నవాళ్లది ఎంతో, అడగకుండా దండలు వేసే మనదీ అంతే. మీ విశ్వవిద్యాలయం ఈ వరసలో చేరకూడదనే ఇంత వివరంగా రాస్తున్నాను.

అనుమతి సంగతి కూడా చెప్పాలి. 1956 నాటి యూజీసీ (విశ్వవిద్యాలయాల నిధుల సంఘం) చట్టం ప్రకారం పార్లమెంటు లేదా శాసనసభ చేసిన చట్టంతో ఏర్పడిన విశ్వవిద్యాలయాలు, డీమ్డ్ హోదా (విశ్వవిద్యాలయంతో సమానమన్న గుర్తింపు) ఉన్న సంస్థలు, పార్లమెంటు ప్రత్యేకంగా అధికారమిచ్చిన సంస్థలు మాత్రమే డిగ్రీ ఇవ్వగలవు. ప్రైవేటు విశ్వవిద్యాలయాల కోసం ఆంధ్రప్రదేశ్‌లో 2016 చట్టం, తెలంగాణలో 2018 చట్టం ఉన్నాయి. వాటిని ఒక న్యాయవాదితో కూర్చుని చదివించుకోండి. మీ లక్ష్యం దైవశాస్త్ర బోధన ఒక్కటే అయితే, కొత్త విశ్వవిద్యాలయం కంటే సెరంపూర్ సెనేట్‌కు అనుబంధంగా కళాశాల నడపడం మేలని నా అభిప్రాయం.

మా ఊళ్లో ఆర్చి కట్టలేదు. అదే పక్కగదిలో, రిటైరైన ఇద్దరు లెక్చరర్లు శనివారం సాయంత్రాలు ఇంటర్ పిల్లలకు లెక్కలు, ఇంగ్లీషు ఉచితంగా చెబుతున్నారు. కిందటి జూన్‌లో 31 మంది చేరారు. వాళ్లలో సగం మంది మా సంఘం పిల్లలు కారు. వాళ్ల పాఠం అయ్యాక నాన్నగారు ఒక గంట గ్రీకు చెబుతున్నారు. దానికి ముగ్గురు వస్తున్నారు.