కామరూపి: ఒక మాట గురించి యువ రచయిత్రికి లేఖ

అమ్మాయీ, శుభాశీస్సులు.

నువ్వు పంపిన కథ రెండుసార్లు చదివాను. చెరువు నిండిన రాత్రి ముసలి అవ్వ కొంగగా మారి గట్టు మీద ఒంటికాలిపై నిలబడిన ఘట్టం దగ్గర కాగితాలు పక్కన పెట్టి కాసేపు ఊరకే కూర్చున్నాను. అంత బాగా వచ్చింది. అయితే ఆ అవ్వను ఏమని పిలవాలో తేల్చుకోవలసిన చోట నీ కలం తడబడింది. మొదటి పుటలో ‘షేప్‌షిఫ్టర్’ అన్నావు, నాలుగో పుటలో ‘ఇచ్ఛాధారి’ అన్నావు, చివరికి వచ్చేసరికి ‘మాయావి’ అన్నావు. సరైన మాట మనకు లేదేమోనన్న బెంగ నీ ఉత్తరంలో కనిపించింది. మాట ఉంది. దాని పేరు కామరూపి. వాడుకలో అరుదైపోయింది కనుక దాన్ని నీ చేతిలో పెట్టేముందు దాని స్వభావం నాలుగు మాటల్లో చెప్పాలనిపించి ఈ ఉత్తరం రాస్తున్నాను.

కామం అంటే కోరిక, రూపం అంటే రూపమే. తాను కోరుకున్న రూపాన్ని కోరుకున్నప్పుడు ధరించగలిగినవాడు కామరూపి, స్త్రీ అయితే కామరూపిణి. ఈ కాలపు పాఠకుడికి ‘కామం’ అనగానే శరీర వాంఛ ఒక్కటే తోస్తుంది కనుక, ఈ మాట చూసి అతడు మొదట తప్పుదారి పట్టే ప్రమాదం ఉన్న మాట నిజమే. అయితే కోరినదిచ్చే ఆవును ఇప్పటికీ కామధేనువనే అంటున్నాము, ఫలాపేక్ష లేని పనిని నిష్కామకర్మ అనే అంటున్నాము. పాత అర్థం చచ్చిపోలేదు, కొన్ని సమాసాలలో తలదాచుకుని ఉంది. మాట పక్కన అర్థం రాయకుండానే, దాని వెనుక వాక్యంలోనో ముందు వాక్యంలోనో ‘అనుకున్న రూపం’ అన్న ఊహ పాఠకుడి మనసులో పడేట్టు చేయగలిగితే, ఆ పాత అర్థం దానంతట అదే మేలుకుంటుంది. మేఘసందేశంలో యక్షుడు మేఘాన్ని పలకరిస్తూ నిన్ను కామరూపుడిగా, ఇంద్రుడి ముఖ్య పురుషుడిగా ఎరుగుదునంటాడు. ఆకాశంలో మేఘం ఏనుగై, కొండై, మరుక్షణం మరొకటై కనిపించడం చూసిన పిల్లవాడికి కూడా ఆ చోట ఈ మాటకు అర్థం విప్పి చెప్పనక్కరలేదు.

ఇక ‘ఇచ్ఛాధారి’ విషయం. అది హిందీ నాగిని కథలతో, డబ్బింగు సీరియళ్ళతో మన ఇళ్ళలోకి వచ్చింది. దాన్ని విడదీసి చూస్తే ‘కోరికను ధరించినది’ అన్న అర్థం వస్తుందే కాని ‘కోరిన రూపాన్ని ధరించినది’ అన్న అర్థం రాదు. రూపమన్న మాటే అందులో లేదు. పాము కథలలో అది స్థిరపడింది కనుక పాముల మట్టుకు దాన్ని ఉండనిద్దాం. నీ అవ్వకు మాత్రం వద్దు.

‘మాయావి’కి, ‘కామరూపి’కి ఉన్న తేడా ఇంకా సూక్ష్మమైనది. మాయావి ఎదుటివాడి చూపును కట్టేస్తాడు. ఉన్నది ఉన్నట్టే ఉంటుంది, చూసేవాడికి వేరొకటిగా కనిపిస్తుంది. కామరూపి మార్చేది తన ఒంటినే. పురాణాలలో ఒకే పాత్రకు రెండు శక్తులూ ఉండడం, రెండు మాటలూ కలగలిసిపోవడం తరచూ జరుగుతుంది, అయినా రాసేవాడికి ఆ గీత తెలిసి ఉండాలి. మారువేషం ఇంకా వేరు. మన ఊళ్ళకు వచ్చే పగటివేషగాళ్ళలో అర్ధనారీశ్వర వేషం కట్టినవాడు అడ్డుతెర అటూ ఇటూ జరుపుతూ ఒక వైపు శివుడిగా, మరో వైపు పార్వతిగా మనల్ని మైమరపిస్తాడు. అది మహత్తరమైన విద్య, కాని అక్కడ మారేది వేషం. పరకాయ ప్రవేశం మరీ దూరం. అందులో తన ఒళ్ళు వదిలి వేరొకరి ఒంట్లో దూరడమే కాని తన ఒళ్ళు మారడం లేదు.

ఈ మాట అసలు బలం తెలియాలంటే వాల్మీకి దగ్గరకు వెళ్ళాలి. బాలకాండలో బ్రహ్మ దేవతలతో, విష్ణువుకు సహాయులుగా బలవంతులను, కామరూపులను సృష్టించండని అంటాడు. ఆ మాట వానరుల గురించి. అదే కాండలో ఆ తర్వాత తాటకను కవి కామరూపిణి అన్నాడు. అరణ్యకాండలో శూర్పణఖ రాముడి ముందు నిలబడి తన పేరు చెప్పుకుంటూ, నేను రాక్షసిని, కామరూపిణిని అని తానే అంటుంది, దాచదు. అంటే రాముడి పక్షాన పోరాడినవారికీ, ఆయనకు ఎదురు నిలిచినవారికీ కవి వాడిన మాట ఒక్కటే. నేను పాతికేళ్ళ వయసులో ఈ సంగతి గమనించక, నా తొలి కథలలో ఒకదానిలో ‘కామరూపి’ని దుర్మార్గుడికి పర్యాయపదంగా వాడాను. మా ఊళ్ళో పురాణం చెప్పే ఒక పెద్దాయన ఆ కథ విని, “మరి హనుమంతుణ్ణి ఏమంటావు నాయనా?” అని మెల్లగా అడిగారు. నా దగ్గర జవాబు లేదు. ఆ ప్రశ్న నన్ను ఇన్నేళ్ళూ వదలలేదు, అందుకే నీకు ముందుగా అందిస్తున్నాను. ఆ మాట శక్తిని చెబుతుంది, గుణాన్ని చెప్పదు. గుణం నువ్వు కథలో చూపించాలి.

సుందరకాండలో ఈ మాటకు ఒక గొప్ప ఘట్టం ఉంది. దాని మీద నువ్వు కొన్ని రోజులు మనసు పెట్టాలని నా కోరిక. లంక బయట హనుమంతుడు ఎలా లోపలికి వెళ్ళాలా అని ఆలోచిస్తూ, ఇక్కడ రాక్షస రూపంలో వెళ్ళినా రాక్షసుల కంట పడకుండా ఉండడం సాధ్యం కాదు, ఇక వేరే రూపాల మాట చెప్పేదేముంది అనుకుంటాడు. ఏ రూపమైనా ధరించగలవాడు చివరికి తన రూపంతోనే, దాన్ని చిన్నది చేసుకుని, పిల్లి అంతై, రాత్రివేళ ఆ ఊళ్ళో అడుగు పెడతాడు. కామరూపికి అన్ని తలుపులూ తెరిచే ఉంటాయి కనుక, అతడు వాటిలో ఏ తలుపును ఎంచుకున్నాడు, ఏది కాదనుకున్నాడు అన్నదే అతడి మనసును మనకు పట్టి ఇస్తుంది. తర్వాత అశోకవనంలో సీత కంట పడేముందు అతడి చింత రూపం నుంచి భాషకు మారుతుంది. ద్విజుడిలా సంస్కృతం మాట్లాడితే ఈమె నన్ను రావణుడనుకుని భయపడుతుందే అని తర్కించుకుంటాడు. రూపం మార్చగలవాడికి గొంతు కూడా ఒక రూపమేనని వాల్మీకి ఎంత జాగ్రత్తగా గుర్తు చేశాడో చూడు.

అయినా అనుమానం తప్పలేదు. సన్యాసి వేషంలో వచ్చి తనను ఎత్తుకుపోయిన రావణుడే మళ్ళీ ఇలా వచ్చాడని సీత భయపడింది. ఉపవాసాలతో కృశించి దీనంగా ఉన్న నన్ను ఇంకా బాధపెడుతున్నావా, ‘కామరూప నిశాచర’ అని పిలిచింది. ఆ పిలుపులో ఒక మాట తప్పు, ఒక మాట ఒప్పు. అతడు నిశాచరుడు కాడు, కామరూపుడు మాత్రం నిజంగానే అయి ఉన్నాడు. నమ్మదగినవాడు ఎదుట నిలబడి ఉన్నా, ఆ ఒక్క శక్తి వల్ల నమ్మలేని స్థితి ఆమెది. తన రూపమే తనకు సాక్ష్యం చెప్పలేని స్థితి అతడిది. అప్పుడు హనుమంతుడు ఏం చేశాడు? ఆమె అడిగిన మీదట రాముడి ఒంటి తీరును, గుణాలను విడమరిచి వర్ణించాడు, ఆ తర్వాత ఉంగరం ఇచ్చాడు. ఎదుటివాడు ఏ రూపంలోనైనా ఉండగలిగిన లోకంలో ఒక మనిషిని మరొక మనిషి గుర్తుపట్టే దారి రూపం కాదు, తెలిసిన సంగతి. నా మటుకు నాకు కామరూపుల కథలన్నిటిలో ఇంతకు మించిన సన్నివేశం లేదు.

మారీచుడి కథలో మరో కిటుకు ఉంది. రత్నాల చుక్కలున్న బంగారు లేడిని చూడగానే లక్ష్మణుడు, ఇలాంటి మృగం లోకంలో లేదు, ఇది మారీచుడే అనేస్తాడు. ఆ రూపంలోని అతిశయమే దాన్ని పట్టిచ్చింది. బాణం తగిలి చనిపోయేముందు మారీచుడు లేడి రూపం వదిలి తన ఒంటికి తాను తిరిగి వచ్చాడు. కాని అతడు రాముడి గొంతుతో పెట్టిన కేక మాత్రం ఆశ్రమానికి చేరి చేయవలసిన కీడంతా చేసింది.

యుద్ధకాండలో ఒక చిన్న ఆజ్ఞ ఉంది, దాన్ని చాలామంది దాటిపోతారు. విభీషణుడి నలుగురు మంత్రులు పక్షులై లంకలోకి వెళ్ళి, కోట కాపలా ఎక్కడెక్కడ ఎలా ఉందో చూసి వచ్చారు. ఆ కబురు విన్న తర్వాత రాముడు సేనకు ఒక కట్టడి పెట్టాడు. యుద్ధంలో వానరులెవరూ మనుష్య రూపం ధరించకూడదు, వానర రూపమే మనవాళ్ళకు గుర్తు; రాముడు, లక్ష్మణుడు, విభీషణుడు, ఆయన నలుగురు మంత్రులు, ఈ ఏడుగురు మాత్రమే మనుష్య రూపంతో పోరాడాలి. రూపాలు మార్చగలవారు రెండు వైపులా ఉన్నప్పుడు ఎవరు ఎవరిని నరుకుతున్నారో తెలియని గందరగోళం వస్తుందని కవికి తెలుసు. అద్భుతం రాసేవాడు ఇంత లెక్కగా ఆలోచించాలి. నీ కథలో ఊరివాళ్ళు వల వేసి కొంగలను పడతారు కదా. మరి అవ్వ కొంగగా ఉన్న రాత్రి వాళ్ళ వల ఎక్కడుంది? ఆ ప్రశ్నను నువ్వు ముట్టుకోలేదు. ముట్టుకుంటే కథకు ఇప్పుడు లేని భయం ఒకటి వస్తుంది.

కోరిక అన్నది ఈ మాటకు వెన్నెముక అన్నాను కదా, అందుకే దీన్ని ఎక్కడ వాడకూడదో కూడా అదే చెబుతుంది. కర్కోటకుడి కాటుతో బాహుకుడైన నలుడు కామరూపి కాడు, ఎందుకంటే ఆ రూపం ఆయన కోరుకున్నది కాదు. శాపం తగిలి కొండచిలువైన నహుషుడూ కాడు. యూరపు కథలలో పున్నమి రాత్రి తోడేలైపోయే మనిషి కూడా చాలా కథలలో తన ప్రమేయం లేకుండానే మారతాడు, అతణ్ణి ‘తోడేలు మనిషి’ అనడమే న్యాయం. స్కాట్లండ్ తీరపు కథలలో సీల్ చర్మం విప్పి ఒడ్డున మనిషిగా తిరిగే స్త్రీలున్నారు, వాళ్ళను సెల్కీలంటారు. ఆ చర్మాన్ని ఎవరైనా దాచేస్తే వాళ్ళు సముద్రానికి తిరిగి పోలేరు. అక్కడ శక్తి కోరికలో లేదు, చర్మంలో ఉంది. జపాను కథలలోని కిట్సునే అనే నక్క మాత్రం వయసు పెరిగేకొద్దీ శక్తి పెంచుకుని, తలచుకుని మనిషి రూపం ధరిస్తుంది కనుక దాన్ని మన మాటతో పిలిచినా తప్పు కాదు. అయితే ఆ దేశపు కథ రాసేటప్పుడు ఆ దేశపు పేరే ఉంచడం మర్యాద.

మన వాతాపి సిసలైన కామరూపి. ఇల్వలుడు అతణ్ణి మేకపోతుగా వండి అతిథికి పెట్టడం, తర్వాత పేరు పెట్టి పిలిస్తే అతడు అతిథి కడుపు చీల్చుకుని బయటికి రావడం, చివరకు అగస్త్యుడు అరిగించుకోవడం నీకు తెలిసినవే. పసిపిల్లలకు పాలు పట్టి పొట్ట నిమురుతూ “జీర్ణం జీర్ణం వాతాపి జీర్ణం” అని మన తల్లులు అంటారు. ఆ తల్లులలో చాలామందికి వాతాపి ఎవరో తెలియకపోవచ్చు, అయినా ఒక కామరూపి పేరు మన వంటింటి దాకా వచ్చి స్థిరపడింది. ఈ ఊహ మనకు పరాయిది కాదని నీకు చెప్పడానికి ఇంతకంటే దగ్గరి సాక్ష్యం నాకు తోచడం లేదు.

వాడుకలో రెండు జాగ్రత్తలు చెబుతాను. ‘ఆమె కామరూపిణిగా మారింది’ అని రాయకు. కామరూపిణి అన్నది ఒక రూపం కాదు, రూపాలను మార్చుకునే శక్తి ఉన్న మనిషి. ఆమె కొంగగా మారుతుంది, మారినప్పుడూ మారనప్పుడూ కామరూపిణే. రెండోది, కామరూపం అని ఒక దేశం ఉంది. అస్సాంలోని ఆ ప్రాంతం పేరు 4వ శతాబ్దపు సముద్రగుప్తుడి ప్రయాగ శాసనంలోనే కనిపిస్తుంది, ఇప్పటికీ అక్కడ కామరూప్ అనే జిల్లా ఉంది. శివుడి కంటి మంటకు బూడిదైన మన్మథుడు తిరిగి రూపం పొందిన చోటు కనుక ఆ పేరు వచ్చిందని పురాణ కథ. అక్కడ కాముడంటే మన్మథుడు, మన మాటలో కామమంటే ఇచ్ఛ. మనకు పెద్దక్షరాలు, చిన్నక్షరాలు లేవు కనుక, ఆ ప్రాంతాన్ని ప్రస్తావించవలసి వస్తే ‘కామరూప దేశం’ అని పూర్తిగా రాయి.

ఇప్పుడు నీ అవ్వ దగ్గరకు వద్దాం. ‘చెరువు నిండిన ప్రతి రాత్రీ అవ్వ కొంగ అయిపోయేది’ అని రాశావు. ఆ వాక్యంలో మారుతున్నది చెరువు మూలంగానా, అవ్వ మూలంగానా? చెరువు నిండడమే కారణమైతే ఆమె కామరూపిణి కాదు, ఆ మాట అక్కడ నిలబడదు, వేరే పేరు వెతుక్కోవాలి. నాకు మాత్రం అవ్వ ఇంట్లో కూర్చుని చెరువు నిండిన చప్పుడు వింటూ, ఈ రాత్రి వెళ్ళాలా వద్దా అని తేల్చుకుంటున్నట్టు కనిపించింది. మనవరాలికి జ్వరం వచ్చిన రాత్రి ఆమె వెళ్ళకుండా ఉండిపోయిందని మూడో పుటలో ఒక్క ముక్కలో అనేసి వదిలేశావు. ఆ ముక్కను తీసుకుని ఒక పుట రాయి. గట్టు మీద నీళ్ళ చప్పుడు, లోపల పిల్ల మూలుగు, మధ్యలో తన మనిషి రూపాన్నే ఎంచుకుని తడిగుడ్డ పిండుతున్న ఆమె చేతులు. ఆ పుట చివర మొదటిసారిగా ఎవరో ఒకరి నోట, మనవరాలి నోటనైతే మరీ మంచిది, ‘కామరూపిణి’ అన్న మాట పలికించు. అంతకుముందు ఎక్కడా వద్దు.

తిరగరాసిన ప్రతిని పంపు. కళ్ళు ఇదివరకటిలా లేవు కనుక అక్షరాలు కాస్త పెద్దవిగా ఉండేట్టు చూడు.

ఆశీస్సులతో,
మీ పెద్దాయన