సెన్సర్ షుగర్ రీడింగులు కేసు రికార్డులోకి చేరాలంటే

ప్రశ్న: చేతికి పెట్టుకున్న గ్లూకోజ్ సెన్సర్ రీడింగులు నా ఫోన్లో బాగానే కనిపిస్తున్నాయి. ఆసుపత్రి వాళ్లిచ్చిన కోడ్ కొట్టి షేర్ కూడా చేశాను. కానీ డాక్టరుగారు నా కేసు రికార్డు తెరిస్తే అందులో ఏమీ లేవు. ఎక్కడ ఆగిపోయాయి?
– ఒక పాఠకురాలు

జవాబు: మీరు షేర్ చేసినవి సెన్సర్ కంపెనీ సైట్‌లో ఆ ఆసుపత్రికున్న ఖాతా దాకా చేరాయి. కేసు రికార్డు వేరే సాఫ్ట్‌వేర్. ఆ సైట్ డెక్స్‌కామ్ సెన్సర్ల క్లారిటీ అయినా, లిబ్రే సెన్సర్ల లిబ్రేవ్యూ అయినా ఇంతే. ఆ సైట్‌నూ కేసు రికార్డునూ ఆసుపత్రి వాళ్లు విడిగా కలపాలి. కలపని చోట ఎవరో ఒకరు రిపోర్టును పీడీఎఫ్‌గా దించి మీ ఫైల్లో పెట్టాలి. మీ ఆసుపత్రిలో ఏ పద్ధతి ఉందో ముందు అడగండి. పీడీఎఫ్ పద్ధతే అయితే అపాయింట్‌మెంట్‌కు ఒకటి రెండు రోజుల ముందే పెట్టమని గుర్తు చేయండి.

రెండూ కలిసి ఉన్నా రీడింగులు రాలేదంటే పేరు, పుట్టిన తేదీ చూడండి. యాప్‌లో ఇంటిపేరు వెనక, రికార్డులో ముందు ఉన్నా, ఒక అక్షరం తేడా ఉన్నా ఇద్దరూ ఒకరేనని సాఫ్ట్‌వేర్ తేల్చుకోలేక ఆగిపోవచ్చు. అలా ఆగడమే మంచిది. మరొకరి షుగర్ మీ రికార్డులో పడితే ఇన్సులిన్ డోసే తప్పుతుంది. పేరు సరిపోయినా రాకపోతే, ఫోన్ మార్చినప్పుడు కొత్త మెయిల్‌తో రెండో అకౌంట్ తెరిచారేమో చూసుకోండి. పాత అకౌంట్‌కు ఇచ్చిన అనుమతి కొత్తదానికి రాదు.

ప్రశ్న: అయిదు నిమిషాలకొక రీడింగ్ వస్తుంది కదా, అన్నీ రికార్డులోకి ఎక్కాలా?

జవాబు: అక్కర్లేదు. రోజుకు 288, పద్నాలుగు రోజులకు 4,032 అంకెలు. ల్యాబ్ రిపోర్టుల మధ్య అన్ని అంకెలు గుమ్మరిస్తే డాక్టరుకు అసలు విషయమే కనపడదు. రికార్డులోకి రావాల్సింది వాటి సారాంశం, దానితోపాటు అన్ని రోజుల రీడింగులనూ ఒకే రోజులా పరిచి చూపే ఏజీపీ అనే ఒక పేజీ గ్రాఫ్. పద్నాలుగు రోజుల్లో కనీసం 70 శాతం సమయానికి రీడింగులుంటేనే ఆ లెక్కను నమ్మాలి. అందుకే సారాంశం పక్కన తేదీలూ, సెన్సర్ ఎంత శాతం పనిచేసిందీ కూడా ఉండాలి. రీడింగులు రాత్రిళ్లే పోతుంటే 70 శాతం దాటినా తృప్తిపడొద్దు, నిద్రలో షుగర్ పడిపోవడం ఆ ఖాళీల్లోనే దాగి ఉండవచ్చు.

2019 అంతర్జాతీయ నిపుణుల ఒప్పందం ప్రకారం టైప్ 1, టైప్ 2 ఉన్న చాలామంది పెద్దలకు షుగర్ (డెసీలీటరుకు) 70–180 మి.గ్రా. మధ్య ఉండే సమయం 70 శాతం మించాలి, 70 మి.గ్రా. కంటే తక్కువలో గడిపేది 4 శాతం లోపు, 54 కంటే తక్కువలో 1 శాతం లోపు ఉండాలి. వయసు పైబడినవారికి, గర్భిణులకు లక్ష్యాలు వేరు.

సారాంశంలో జీఎంఐ అనే అంకె కూడా ఉంటుంది, సెన్సర్ సగటును బట్టి హెచ్‌బీఏ1సీ ఎంత ఉండవచ్చో వేసే అంచనా అది. సగటు షుగర్‌ను (మి.గ్రా.లలో) 0.02392తో గుణించి 3.31 కలిపితే అది వస్తుంది. సగటు 150 అయితే సుమారు 6.9. దీన్ని హెచ్‌బీఏ1సీ గడిలో నింపితే పెద్ద పొరపాటు. హెచ్‌బీఏ1సీ అంటే రెండు మూడు నెలల సగటు షుగర్‌ను తెలిపే రక్తపరీక్ష, జీఎంఐ సెన్సర్ లెక్క, రెండూ ఒకటే రావాలని లేదు. సెన్సర్ కొలిచేది చర్మం కింద కణాల మధ్య ద్రవంలోని గ్లూకోజ్‌ను. రక్తంలో వచ్చిన మార్పు అక్కడ కొన్ని నిమిషాలు ఆలస్యంగా తెలుస్తుంది. కాబట్టి రికార్డులో "సెన్సర్" అన్న గుర్తు తప్పనిసరి. యూనిట్ కూడా చూడాలి, మిల్లీమోల్‌లో ఉంటే 18తో గుణిస్తే మి.గ్రా. అవుతుంది.

సెన్సర్ ఉన్న చేయి కింద పడేలా పడుకుంటే ఒత్తిడికి రీడింగ్ తప్పుగా పడిపోతుంది. అలాంటి రాత్రులు రాసి పెట్టుకుని డాక్టరుకు చెప్పండి. గ్రాఫ్ ఒక్కటే చూస్తే అది నిజమైన లో షుగర్ లాగే ఉంటుంది, దాన్ని చూసి ఇన్సులిన్ తగ్గించే ప్రమాదం ఉంది.

ప్రశ్న: షేర్ చేశాక అర్ధరాత్రి షుగర్ పడిపోతే ఆసుపత్రికి తెలుస్తుందా?

జవాబు: తెలుస్తుందని అనుకోవద్దు. ఆ డేటాను సంప్రదింపు సమయంలో చూస్తారు, రాత్రంతా ఎవరూ కాపలా ఉండరు. ఫోన్లో అలారం ఆపొద్దు. ఇంట్లోవాళ్ల ఫోన్లో మీ రీడింగులు చూపే యాప్, డెక్స్‌కామ్ ఫాలో గానీ, లిబ్రేలింక్‌అప్ గానీ పెట్టించండి. ఇది ఆసుపత్రికి షేర్ చేయడం కంటే వేరు, దీనికి విడిగా అనుమతివ్వాలి. వణుకు, చెమటలు ఉన్నా సెన్సర్ మామూలు అంకె చూపిస్తుంటే వెంటనే వేలి రక్తంతో గ్లూకోమీటర్‌లో పరీక్షించుకుని, ఆ అంకెను బట్టి నడుచుకోండి.