కేసు కొట్టేశారంటే ఓడిపోయినట్టేనా?

సందేహం: తోట గట్టు తగాదాలో మా చిన్నాన్నగారు వేసిన దావా వాయిదాకి ఆయనా వెళ్లలేదు, ప్లీడరుగారూ వెళ్లలేదు. కోర్టు కొట్టేసింది. ఊళ్లో "ఓడిపోయారటగా" అని పలకరిస్తున్నారు. పేపర్లలో ఇలాంటివాటికి ఒకచోట కొట్టివేత, ఒకచోట తిరస్కరణ, ఇంకోచోట తోసిపుచ్చడం, పైగా "సాంకేతిక కారణాలతో" అని రాస్తున్నారు. అన్నీ ఒకటేనాండి?
— కోనసీమ లంక గ్రామం నుంచి ఒక పాఠకుడు

సమాధానం: నిఘంటువులో చుట్టాలే గానీ కోర్టు గుమ్మం ఎక్కాక ఎవరి దారి వారిది. అప్పీలు ఉందా లేదా అన్నది కోర్టు ఇచ్చింది ఏ రకం ఉత్తర్వు అన్న దాని మీదే ఆధారపడుతుంది.

తోసిపుచ్చాలంటే ముందు ఎవరో ఏదో వాదించి ఉండాలి. "ప్రతివాది అభ్యంతరాన్ని తోసిపుచ్చింది" అంటే విని, కాదన్నదని. ఎవరూ నోరు విప్పని చోట ఆ మాట అతకదు.

తిరస్కరణ ప్లెయింటుకు, అంటే దావా వేస్తూ కోర్టుకిచ్చే పత్రానికి. దావాకు కారణమే కనబడకపోయినా, తగ్గిన కోర్టు ఫీజు గడువిచ్చినా కట్టకపోయినా, చట్టమే అడ్డొచ్చినా సివిల్ ప్రొసీజర్ కోడ్ 7వ ఆర్డరు 11వ రూలు కింద తిరస్కరిస్తారు. దీన్ని డిక్రీగానే, అంటే హక్కులు తేల్చిన తీర్పు లాగే లెక్కిస్తారు కాబట్టి నేరుగా అప్పీలుకు వెళ్లొచ్చు. కాలపరిమితి మిగిలి ఉంటే సరిచేసి కొత్త ప్లెయింటూ వేసుకోవచ్చు.

మీ చిన్నాన్నగారిది కొట్టివేత. గుమాస్తాలు "డిఫాల్టులో పోయింది" అంటారు, హాజరు కానందుకు పోయిందని, నాకు పత్రికల మాటకన్నా అదే నచ్చుతుంది. గట్టు ఎవరిదో కోర్టు తేల్చనే లేదు, అలాంటప్పుడు "ఓడిపోయారు" అనడం తప్పు. అయితే అంతమాత్రాన ధీమాగా ఉండొద్దు. డిక్రీ నిర్వచనం నుంచి ఈ కొట్టివేతను చట్టమే తప్పించింది కాబట్టి దీని మీద అప్పీలు లేదు. ఆ రోజు ఎదుటివాళ్లు హాజరయ్యారో లేదో ముందు కనుక్కోండి. వాళ్లు వచ్చి మీవాళ్లు రాకపోతే అదే కోడ్‌లోని 9వ ఆర్డరు 8వ రూలు వర్తిస్తుంది. అదే కారణం మీద మళ్లీ దావా వేయడానికి వీల్లేదు. కొట్టేసిన కోర్టులోనే 30 రోజుల్లో పునరుద్ధరణ అర్జీ, అంటే దావాను మళ్లీ తెరవమన్న అర్జీ పెట్టాలి. అదీ కోర్టు కాదంటే అప్పుడు ఆ ఉత్తర్వు మీద 43వ ఆర్డరు కింద అప్పీలు. ఇద్దరూ రాకపోయి ఉంటే 3వ రూలు, అప్పుడు 4వ రూలు ప్రకారం కొత్త దావాకూ చోటుంది.

ఇక "సాంకేతిక కారణాలు". ఈ మాట వినగానే ఆగిపోయిన రైలో, మొరాయించిన కంప్యూటరో తలపుకొస్తుంది. కోర్టు వార్తలో దాన్ని వాడటం నాకు బద్ధకంగా తోస్తుంది. "హాజరు కానందుకు", "సమన్ల ఖర్చు కట్టనందుకు", "గడువు దాటినందుకు" అని జరిగింది జరిగినట్టు రాస్తే చాలు. అన్నిటికీ కలిపి ఒక మాట కావాలంటే "విధానపరమైన లోపం" ఉండనే ఉంది. "పిటిషన్‌పై అప్పీలు" అన్నదీ పొరపాటే, అప్పీలు ఉత్తర్వు మీదే.

అర్జీ రాయించేటప్పుడు "అనివార్య కారణాల వల్ల హాజరు కాలేకపోతిని" అన్న పాత వాక్యాన్ని మాత్రం రానివ్వకండి. ఏ కారణమూ చెప్పని వాక్యమది. వరద రోజుల్లో కాజ్‌వే మునిగి లంక దాటలేకపోతే ఆ మాటే, తేదీతో సహా రాయించండి. 30 రోజులూ దాటిపోతే, గడువులు చెప్పే లిమిటేషన్ చట్టం 5వ సెక్షను కింద ఇంకో అర్జీ జతచేయాలి. దాన్ని కొందరు "ఆలస్యాన్ని క్షమించుట" అని రాస్తారు. క్షమించడం తప్పుకు. ఇక్కడ అడిగేది ఆలస్యాన్ని పట్టించుకోకుండా లోపలికి రానిమ్మని, అందుకు "మన్నింపు" సరిపోతుంది. 1987లో అనంతనాగ్ భూసేకరణ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది కూడా ఈ ధోరణిలోనిదే: ప్రతి రోజు ఆలస్యానికీ లెక్క చెప్పాలన్న సూత్రాన్ని పిడివాదంగా పట్టుకోకూడదని, ఇంగితంతో చూడాలని.