పెద్దపేగులో ఒకటికి ఇరవై పాలిప్స్... ఇది క్యాన్సర్ అవుతుందా?

ప్రశ్న: డాక్టర్ గారూ, నా వయసు 51. ఏడాదిన్నర కిందట మలంలో రక్తం కనిపిస్తే కొలనోస్కోపీ చేశారు. రక్తం మొలల వల్ల వచ్చిందన్నారు. అయితే పేగులో 9 చిన్న పాలిప్స్ కూడా ఉంటే తీసేశారు. అవి హైపర్‌ప్లాస్టిక్ రకం, భయపడాల్సిందేమీ లేదన్నారు. ఈమధ్య మరో డాక్టర్ దగ్గర మళ్లీ చేయించుకుంటే ఈసారి 13 కనిపించాయి. వాటిలో నాలుగు కుడివైపు ఉన్నాయి, ఇద్దరు పెద్దవి ఒక్కోటి ఒక సెంటీమీటరుకు మించి ఉన్నాయి. బయాప్సీలో ‘సెసైల్ సెర్రేటెడ్ లీజన్’ అని వచ్చింది. మీకున్నది సెర్రేటెడ్ పాలిపోసిస్ సిండ్రోమ్, ఏడాదికల్లా మళ్లీ రావాలి అంటున్నారు. నెట్‌లో చదివితే క్యాన్సర్ ముప్పు ఎక్కువని ఉంది. అప్పట్నుంచీ నిద్ర లేదు. పేగు తీయించేసుకుంటే మంచిదా? ప్రతిసారీ కొలనోస్కోపీ కాకుండా మల పరీక్షతో సరిపెట్టుకోవచ్చా? నాకు పాతికేళ్లుగా సిగరెట్ అలవాటుంది. నా తమ్ముడికి 47, అమ్మాయికి 24. వాళ్లకూ వస్తుందా?

సలహా: ముందుగా మీ టెన్షన్ తగ్గే మాట చెబుతాను. మీకు ఇప్పుడు క్యాన్సర్ లేదు. క్యాన్సర్‌గా మారే అవకాశం ఉన్న పాలిప్స్ మారకముందే దొరికాయి, వాటిని తీసేశారు కూడా. ఈ జబ్బులో ఎక్కువ హాని జరిగేది అది ఉందని తెలియనివాళ్లకే. మీకు తెలిసింది. ఇక చేయాల్సింది క్రమం తప్పకుండా పరీక్షలకు వెళ్లడం.

పెద్దపేగు లోపలి పొర మీద పెరిగే చిన్న బుడిపెలను పాలిప్స్ అంటాం. వీటిలో ముఖ్యంగా రెండు జాతులున్నాయి. ఒకటి అడినోమా. రెండోది సెర్రేటెడ్ రకం. దీన్ని మైక్రోస్కోప్ కింద చూస్తే గ్రంథుల అంచులు రంపపు పళ్లలా కనిపిస్తాయి. హైపర్‌ప్లాస్టిక్ పాలిప్, సెసైల్ సెర్రేటెడ్ లీజన్, ట్రెడిషనల్ సెర్రేటెడ్ అడినోమా మూడూ ఈ రెండో జాతిలోవే. చాలాకాలం వీటిని ఎవరూ పెద్దగా పట్టించుకోలేదు. పెద్దపేగు క్యాన్సర్ అంటే అడినోమా నుంచే వస్తుందని నమ్మేవారు. ఇప్పుడు మొత్తం పెద్దపేగు క్యాన్సర్లలో దాదాపు 15 నుంచి 30 శాతం ఈ సెర్రేటెడ్ దారిలోనే వస్తున్నాయని తెలిసింది.

ఇలాంటి పాలిప్స్ ఒకటి రెండు చాలామందిలో ఉంటాయి. అంతమాత్రాన సిండ్రోమ్ అనరు. ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019లో సవరించిన నిర్వచనం ప్రకారం రెండు షరతుల్లో ఏదో ఒకటి నెరవేరాలి. మలాశయానికి పైన ఉన్న పేగులో కనీసం 5 సెర్రేటెడ్ పాలిప్స్ ఉండి, అవన్నీ 5 మిల్లీమీటర్లు లేదా అంతకు మించి ఉండి, వాటిలో కనీసం రెండు 10 మిల్లీమీటర్లు లేదా ఆపైన ఉండటం మొదటిది. సైజుతో పని లేకుండా పెద్దపేగు పొడవునా మొత్తం 20కి మించి ఉండి, వాటిలో కనీసం 5 మలాశయానికి పైన ఉండటం రెండోది.

ఇక్కడ మీరు ఒక విషయం గట్టిగా గుర్తుపెట్టుకోవాలి. ఈ లెక్క ఒక్క కొలనోస్కోపీది కాదు. ఇప్పటిదాకా చేయించుకున్న అన్ని కొలనోస్కోపీలలో దొరికినవీ కలిపి లెక్కేయాలి. మీ మొదటి రిపోర్టు విడిగా చూస్తే 9, రెండోది విడిగా చూస్తే 13. ఏ ఒక్కటీ 20 దాటదు. కలిపితే 22. మీ రెండో డాక్టర్ పాత రిపోర్టు అడిగి చూశారు కాబట్టే జబ్బు పేరు బయటపడింది. పాత కాగితాలు ఇంట్లోనే ఉండిపోయి, ఏటా కొన్ని తీయించుకుంటూ, ప్రతిసారీ ‘ఏం లేదు’ అనిపించుకుని వెళ్లిపోయేవాళ్లు ఎందరో. పేగులో పాలిప్స్ ఎక్కువ సంఖ్యలో వచ్చే పాలిపోసిస్ జబ్బులన్నిటిలోకీ ఇదే ఎక్కువగా కనిపించేది, అయినా ఎక్కువగా దాటిపోయేదీ ఇదేనంటే బాధగా ఉంటుంది. అందుకే మీ కొలనోస్కోపీ రిపోర్టులు, బయాప్సీ రిపోర్టులు అన్నీ ఒకే ఫైల్లో పెట్టి ప్రతి విజిట్‌కూ తీసుకెళ్లండి.

మొదటిసారి ‘హైపర్‌ప్లాస్టిక్’ అని రావడం గురించి. మలాశయంలో, పేగు చివరి భాగంలో ఉండే అతి చిన్న హైపర్‌ప్లాస్టిక్ పాలిప్స్ నిజంగానే దాదాపు హాని చేయవు. ఆ మాట చెప్పినవాళ్లు తప్పు చెప్పలేదు. కానీ అవి కూడా సిండ్రోమ్ లెక్కలోకి వస్తాయి. పైగా హైపర్‌ప్లాస్టిక్, సెసైల్ సెర్రేటెడ్ రకాలు మైక్రోస్కోప్ కింద దగ్గరి పోలికతో ఉంటాయి కాబట్టి ఒకదాన్ని మరొకటిగా చదవడం అరుదేమీ కాదు. ల్యాబులో పాత స్లైడ్స్ ఉంటే జీర్ణకోశ పాథాలజీలో అనుభవం ఉన్నవారితో మరోసారి చదివించమని మీ డాక్టర్‌ను అడగండి. ఖర్చూ శ్రమా పెద్దగా ఉండవు, లాభం మాత్రం ఉంటుంది.

ఇవి క్యాన్సర్‌గా ఎలా మారతాయో తెలిస్తే ఏడాదికే ఎందుకు రమ్మన్నారో అర్థమవుతుంది. సెసైల్ సెర్రేటెడ్ పాలిప్‌లో మొదట బీరాఫ్ అనే జన్యువులో మార్పు వస్తుంది. క్రమంగా కొన్ని జన్యువుల మీద మిథైల్ రసాయన గుర్తులు పేరుకుని అవి పనిచేయడం మానేస్తాయి. అలా ఆగిపోయేవాటిలో ఎంఎల్‌హెచ్1 ముఖ్యమైంది. కణం విభజన చెందేటప్పుడు డీఎన్‌ఏలో దొర్లే తప్పుల్ని సరిదిద్దేది అదే. అది ఆగిపోతే తప్పులు పోగుపడతాయి. మొదటి దశ చాలా ఏళ్లు నెమ్మదిగా సాగుతుంది. కానీ పాలిప్‌లో ‘డిస్‌ప్లేజియా’ అంటే కణాల తీరు మారడం మొదలయ్యాక క్యాన్సర్‌ దాకా వెళ్లే దారి చాలా కొద్ది కాలంలోనే పూర్తి కావచ్చు. మీ బయాప్సీ రిపోర్టులో డిస్‌ప్లేజియా అన్న మాట ఉందో లేదో చూసుకోండి. మీరు రాసినదాంట్లో అది లేదు. లేకపోతే మంచి కబురే.

ఇక ముప్పు ఎంత? మీరు నెట్‌లో చూసిన భయపెట్టే అంకెలు పాత అధ్యయనాలవి అయి ఉంటాయి. వాటిలో అప్పటికే క్యాన్సర్ ఉండి పెద్ద ఆసుపత్రులకు వచ్చినవాళ్లే ఎక్కువ. ఈ సిండ్రోమ్ ఉన్నవారిలో మొత్తం మీద సుమారు 15 నుంచి 30 శాతం మందిలో పెద్దపేగు క్యాన్సర్ కనిపించిందని పెద్ద అధ్యయనాలు చెబుతున్నాయి. ఆ క్యాన్సర్లలో చాలా భాగం సిండ్రోమ్ బయటపడిన రోజుకో, అంతకుముందో ఉన్నవే. పాలిప్స్ అన్నీ తీయించుకుని క్రమంగా పరీక్షలకు వచ్చేవారిలో అయిదేళ్ల కాలంలో క్యాన్సర్ వచ్చినవారు 1 నుంచి 3 శాతం వరకు మాత్రమే. మీరు ఇప్పుడు ఈ రెండో గుంపులో ఉన్నారు. అందులోంచి బయటికి వెళ్లకండి.

పేగు తీయించుకోవాల్సిన అవసరం మీకు ఇప్పుడు లేదు. క్యాన్సర్ ఉన్నప్పుడో, పాలిప్స్ ఎంత తీసినా అదుపులోకి రానప్పుడో, ఎండోస్కోప్‌తో తీయడం కుదరనప్పుడో మాత్రమే ఆపరేషన్ గురించి ఆలోచిస్తాం. ఆపరేషన్ చేసి మలాశయాన్ని ఉంచినా అందులో మళ్లీ పాలిప్స్ వస్తాయేమోనని పరీక్షలు తప్పవు. భయం పోగొట్టుకోవడానికి పేగు తీయించుకోవడం సరైన బేరం కాదు.

మల పరీక్ష సంగతి. మలంలో కంటికి కనపడని రక్తాన్ని పట్టే ఫిట్ పరీక్ష మామూలు వాళ్లకు స్క్రీనింగ్‌గా మంచిదే. మీకు సరిపోదు. సెర్రేటెడ్ పాలిప్స్ చాలావరకు రక్తం కార్చవు. సీటీ స్కాన్‌తో చేసే కొలనోగ్రఫీలోనూ ఈ చదునైన పాలిప్స్ సులువుగా తప్పిపోతాయి. రక్తంలో చూసే సీఈఏ పరీక్ష పాలిప్స్‌ను కనిపెట్టదు. కాబట్టి కొలనోస్కోపీకి ప్రత్యామ్నాయం లేదు. కష్టమే, కాదనను.

అదీ జాగ్రత్తగా చేసిన కొలనోస్కోపీ కావాలి. ఈ పాలిప్స్ పేగు గోడకు అతుక్కుని చదునుగా, చుట్టుపక్కల పొర రంగులోనే పాలిపోయి ఉంటాయి. అంచులు తేలవు. పైన పలుచటి జిగురు పొర కప్పుకుని ఉంటుంది. కుడివైపు మడతల వెనక దాక్కుంటాయి. అడినోమా కంటే వీటిని కనిపెట్టడం కష్టం. పేగు పూర్తిగా శుభ్రం కాకపోతే చూసినా లాభం ఉండదు. మీ చేతిలో ఉన్నది ఈ శుభ్రతే, దీన్ని తేలిగ్గా తీసుకోకండి. విరేచనాల మందు సగం ముందు రోజు సాయంత్రం, మిగతా సగం పరీక్షకు నాలుగైదు గంటల ముందు తాగితే కుడివైపు పేగు బాగా శుభ్రమవుతుంది. మీ ఆసుపత్రిలో మందంతా ముందు రోజే తాగమంటే, రెండు విడతలుగా తాగవచ్చా అని అడగండి. డాక్టర్ స్కోపును చివరిదాకా పోనిచ్చి వెనక్కి తీసుకుంటూ తీరిగ్గా చూడాలి. పాలిప్స్ లేని పేగుకే కనీసం 6 నుంచి 8 నిమిషాలు కావాలంటారు, మీకు ఇంకా ఎక్కువే పడుతుంది. రంగు చల్లి చూడటం, ప్రత్యేక కాంతిలో చూడటం వంటి పద్ధతులు అందుబాటులో ఉంటే ఉపయోగపడతాయి. సెర్రేటెడ్ పాలిపోసిస్ రోగుల్ని తరచూ చూసే డాక్టర్ దొరికితే ఆయన దగ్గరే కొనసాగండి, ఊరికే డాక్టర్లను మార్చకండి.

మొదటి పని, 5 మిల్లీమీటర్లు, ఆపైన ఉన్నవాటిని మొత్తం తీసేయడం. దీనికి ఒకటికి రెండు మూడు విడతలు పట్టవచ్చు. కరెంటు వాడకుండా వైరు ఉచ్చుతో కోసి తీసే కోల్డ్ స్నేర్ పద్ధతి చాలామందికి సురక్షితం. ఆ తర్వాత కనిపించిన పాలిప్స్‌ను బట్టి ఏడాదికో రెండేళ్లకో కొలనోస్కోపీ. మీకు పెద్దవి రెండు ఉన్నాయి కాబట్టి ఏడాదికి రమ్మనడం సరైనదే. ముందు ముందు తక్కువ కనిపిస్తే రెండేళ్లకు మార్చవచ్చు. పాలిప్ తీసిన తర్వాత రెండు వారాల లోపు ఎక్కువ రక్తం పోయినా, కడుపులో తీవ్రమైన నొప్పి వచ్చినా, జ్వరం వచ్చినా వెంటనే ఆసుపత్రికి వెళ్లండి. మధ్యకాలంలో మలంలో మళ్లీ రక్తం పడితే మొలలే అనుకుని ఊరుకోకండి.

సిగరెట్ మానేయండి. ఈ మాట అలవాటుగా చెప్పడం లేదు. ఈ సిండ్రోమ్‌కు పొగతాగడంతో స్పష్టమైన సంబంధం కనిపించింది, సెర్రేటెడ్ పాలిప్స్ పొగ తాగేవారిలో ఎక్కువ. పాతికేళ్ల అలవాటు సొంతంగా మానడం కష్టమైతే నికోటిన్ గమ్, ప్యాచ్, మందులు ఉన్నాయి, అడగడానికి మొహమాటపడకండి. మద్యం అలవాటుంటే అదీ తగ్గించండి. పాలిప్స్ రాకుండా ఆస్పిరిన్ మంచిదని చదివి సొంతంగా వేసుకోకండి. ఈ సిండ్రోమ్‌లో ఆస్పిరిన్ వాడాలన్న సూచన లేదు, పాలిప్ తీసినచోట రక్తం పోయే ప్రమాదం మాత్రం ఉంటుంది.

చివరిగా మీవాళ్ల గురించి. ఎక్కువమందిలో ఈ సిండ్రోమ్‌కు కారణమైన ఒకే జన్యువు కనిపించదు. కొద్దిమందిలో ఆర్‌ఎన్‌ఎఫ్43 అనే జన్యువులో లోపం ఉంటుంది. అడినోమాలు కూడా ఎక్కువగా ఉన్నవారిలో మ్యుటీవైహెచ్ జన్యువును పరీక్షించి, ఆ జన్యు లోపంతో వచ్చే మరో పాలిపోసిస్ జబ్బు కాదని తేల్చుకుంటారు. మీకు జన్యుపరీక్ష కావాలో లేదో మీ డాక్టర్ పాలిప్స్ రకాలు చూసి చెబుతారు. అయితే జన్యువు దొరక్కపోయినా, తోబుట్టువుల్లో, పిల్లల్లో పెద్దపేగు క్యాన్సర్ ముప్పు మామూలు కంటే ఎక్కువని, కొన్ని అధ్యయనాల్లో అయిదింతల దాకా ఉందని తేలింది. మీ తమ్ముడు లక్షణాలేవీ లేకపోయినా ఆలస్యం చేయకుండా కొలనోస్కోపీ చేయించుకోవాలి. బాగుంటే సాధారణంగా అయిదేళ్లకోసారి. అమ్మాయికి ఇప్పుడే అక్కర్లేదు. ఇలాంటి కుటుంబాల్లో పరీక్ష 40 ఏళ్లకో, జబ్బు బయటపడ్డవారి వయసుకు పదేళ్ల ముందో, ఏది ముందైతే అప్పుడు మొదలుపెట్టాలని చాలా మార్గదర్శకాలు చెబుతాయి, కొన్ని 45 అంటాయి. మీకు 51లో తెలిసింది కాబట్టి పదేళ్లు తీసేస్తే 41, అంటే ఆమెకు 40 నుంచి. ఈలోగా మలంలో రక్తం, కారణం తెలియని రక్తహీనత వంటివి కనిపిస్తే మాత్రం వయసు చూడకుండా డాక్టర్‌ను కలవాలి, నాన్నకు ఈ సిండ్రోమ్ ఉందని మొదటే చెప్పాలి. మీ రిపోర్టుల కాపీ ఒకటి తమ్ముడికీ, ఒకటి అమ్మాయికీ ఇవ్వండి.